పాలు తీసే పంపుల గోడౌన్

మా పిన్నిని వీధిలో అందరూ ఆరా పిన్ని అంటారు. కూరగాయలు కొనేటప్పుడు తక్కెడకు అవతలివైపు వెళ్లి కూడా చూస్తుంది. బస్సులో పక్కన కూర్చున్న మనిషి ఎవరో, ఏ పనిమీద వెళ్తున్నారో కనుక్కోకుండా దిగదు. అయితే ఆరా తీసిన ఇంటికల్లా ఏదో ఒక సాయం చేసి వచ్చేది కూడా ఆవిడే. ఎవరికైనా జ్వరమని తెలిస్తే జావ కాచి పట్టుకెళ్తుంది. జబ్బు సంగతి మొదట్నుంచీ చివరిదాకా వినేదాకా గిన్నె మాత్రం వెనక్కి తీసుకోదు.

బాబాయి పోయాక పిన్ని రైలు గేటు అవతల ఒక గోడౌన్‌లో పనికి కుదిరింది. అట్టపెట్టెలు విప్పడం ఆమె పని. పెట్టెల మీద నవ్వుతున్న పసిపాప బొమ్మ. లోపల తల్లిపాలు తీసే పంపులు. వాటిని సీలు తీసి, పళ్లెంలో పేర్చి, గోడలో ఉన్న చిన్న కిటికీలోంచి వెనక గదిలోకి తోయాలి. ఆ గది తలుపు ఎప్పుడూ లోపల్నుంచి గడియ పెట్టే ఉంటుంది. స్క్రూలు తిప్పే చప్పుడు తప్ప మాట వినబడదు. సాయంత్రానికి విప్పేసిన ప్లాస్టిక్ డొక్కులు బస్తాల్లో బయటికి వస్తాయి. తుక్కు కొట్టువాడు వచ్చి ఎత్తుకుపోతాడు.

యజమాని ఎన్నడూ గొంతు పెంచడు. అందుకని పనివాళ్లు ఆయనకు నెమ్మదయ్య అని పేరు పెట్టారు. ఎండలో వచ్చినవాళ్లకు తనే మంచినీళ్లు అందిస్తాడు. పిన్ని అడిగితే, కంపెనీవాళ్లు చెకింగ్ చేయిస్తున్నారనీ, లోపం ఉన్న భాగాలు వెనక్కి పోతాయనీ చెప్పాడు. పిన్నికి ఆ మాట మింగుడుపడలేదు.

"చెకింగంటే కొన్నయినా పాసవ్వాలి కదే. ఇదేం పరీక్ష, బడికి బడే తప్పుతోంది?" అంది నాతో. ఇద్దరం నవ్వుకున్నాం. అప్పటికి అంతే.

తర్వాత మా చెల్లెలు, అంటే పిన్ని కూతురు, నెలలు నిండకుండానే ప్రసవించింది. దేవుడి దయవల్ల తల్లీబిడ్డా దక్కారు కానీ, పాపకు రొమ్ము పట్టి చీకే బలం లేదు. పాలు తీసి చెంచాతో పట్టమని ఆసుపత్రి నర్సు చెప్పింది. చేత్తో పిండితే ప్రాణం పోయే నొప్పి, వచ్చేది చెంచాడు. రొమ్ములు రాళ్లలా గట్టిపడి చెల్లెలికి జ్వరం తగిలింది. పాప ఏడుపు రోజురోజుకీ సన్నబడుతోంది. పంపు కొందామని ఊళ్లో మందుల షాపులన్నీ తిరిగాను. ఎక్కడా లేదు. వచ్చిన సరుకు వచ్చినట్టే ఎవరో మొత్తంగా కొనుక్కుపోతున్నారని ఒక షాపాయన విసుక్కున్నాడు.

పిన్ని నెమ్మదయ్యను ఒక పంపు ఇవ్వమని అడిగింది, జీతంలో పట్టుకోమంది. అన్నీ లోపం సరుకేననీ, పసిబిడ్డ విషయంలో ఆ పాపం తను మూటగట్టుకోలేననీ ఆయన తల అడ్డంగా ఊపాడు. అంత మంచిమాట విన్నాకే పిన్నికి అనుమానం ముదిరింది. తిన్నగా తుక్కు కొట్టుకు వెళ్లి ఒక డొక్కు తెచ్చి మరిది ముందు పెట్టింది. ఆయన ఫ్రిజ్జులు బాగుచేస్తాడు.

ఆయన విప్పి చూశాడు. మోటారు ఉంది, గొట్టం ఉంది. మధ్యలో బోర్డు ఉండాల్సిన చోటు బోసిగా ఉంది.

"ఇది చెకింగ్ కాదు వదినా, పీకుడు," అన్నాడు. "దీన్ని నడిపే చిప్పు ఆ బోర్డు మీదే ఉంటుంది. దానికోసమే."

"అంత గోరంత ముక్కకా?"

ఆయన గొంతు తగ్గించి చెప్పాడు. సరిహద్దు అవతల యుద్ధం చేస్తున్న దేశానికి చిప్పులు అమ్మకూడదని మిగతా దేశాలు ఆంక్షలు పెట్టాయట. ఉత్త చిప్పులే పెట్టెల్లో వస్తే, ఎవరికి, ఎందుకు అని ఆరాలు తీస్తారు. పసిపిల్లల సామాను మీద ఎవరికీ అనుమానం రాదు. ఇక్కడిదాకా పాల పంపుగా వచ్చి, ఇక్కణ్ణుంచి ఏ బట్టల మూటల్లోనో దాటిపోతుంది. అక్కడ బాంబులు మోసుకెళ్లే డ్రోన్లకు తగిలిస్తారని చెప్పుకుంటున్నారట.

"నువ్వు చూశావా?" అంది పిన్ని.

"చూడలేదు. కానీ ఆ గది తలుపు ఎందుకు తియ్యరో నువ్వే చెప్పు."

మర్నాడు పిన్ని పనికి వెళ్లలేదు. మధ్యాహ్నం నెమ్మదయ్యే ఇంటికి వచ్చాడు. ఒక చేతిలో పళ్లు, ఇంకో చేతిలో సీలు విప్పని పెట్టె. ఉయ్యాల పక్కన కుర్చీలో కూర్చుని పాపను చూసి, పోలికలు అమ్మమ్మవే అన్నాడు. నేను గుమ్మంలో నిలబడ్డాను. చెల్లెలు ఆ పెట్టె మీంచి చూపు తిప్పలేదు.

"తుక్కు కొట్టు నుంచి మన డొక్కు తెచ్చి మీ మరిదిగారి చేత విప్పించారట. ఆయనకెందుకమ్మా అంత శ్రమ?" అన్నాడు నెమ్మదయ్య.

"ఇది నిండుదేనా, డొక్కేనా?" అంది పిన్ని.

"సీలు మీరే విప్పి చూసుకోండి."

"దీనికి బదులు నేనేం చెయ్యాలి?"

"ఏమీ చెయ్యొద్దమ్మా. నేను అడిగేది అదే."

పిన్ని కాసేపు ఉయ్యాలకేసి చూసింది. పాప నోరు తెరిచింది కానీ ఏడుపు బయటికి రాలేదు. పిన్ని సీలు చింపింది. వేణ్ణీళ్లతో గిన్నె, గొట్టం కడిగి చెల్లెలికి ఇచ్చి లోపలికి పంపింది. మోటారు గురగుర మొదలైంది. కొంతసేపటికి చెల్లెలు ఏడుస్తోందో నవ్వుతోందో తెలియని మొహంతో పాలసీసా పట్టుకుని వచ్చింది. పిన్ని పాపను ఒళ్లో వేసుకుని చెంచాతో ఒక్కో గుటకా పట్టింది. పాప కడుపు నిండి, కళ్లు మూసింది.

అప్పుడు పిన్ని లేచి, నెమ్మదయ్యకు గ్లాసుతో మంచినీళ్లు ఇచ్చింది.

"బిడ్డ ఆకలి తీర్చారు. మీ పేరు చెప్పి రోజూ దేవుడికి దండం పెట్టుకుంటాను. ఆ గది సంగతి మాత్రం దాచను, అడిగినవాళ్లకల్లా చెప్తాను. అవతల కూడా ఉయ్యాలలుంటాయి కదండీ."

"అడిగేవాళ్లెవరున్నారమ్మా," అన్నాడాయన, ఎప్పటిలాగే మెల్లగా. నీళ్లు పూర్తిగా తాగి, గ్లాసు కింద పెట్టి వెళ్లిపోయాడు. పంపు వెనక్కి అడగలేదు. దానికే పిన్ని భయపడింది.

ఎందుకు అడగలేదో మర్నాడు గోడౌన్ గేటు దగ్గర తెలిసింది. తోటి పనివాళ్లకు సంగతి చెబుదామని పిన్ని వెళ్తే, వాళ్లు ముందే మొహాలు తిప్పుకున్నారు. పెట్టె దొంగిలించినందుకు పిన్నిని పనిలోంచి తీసేశారని అప్పటికే ప్రచారమైపోయింది.

"సీలున్న పెట్టె నడుచుకుంటూ మీ ఇంటికొచ్చిందా పిన్నీ?" అంది కళ్లద్దాలావిడ. పిన్ని పక్కనే కూర్చుని పెట్టెలు విప్పే మనిషి ఆవిడ. మిగతావాళ్లు కిసుక్కుమన్నారు. పిన్ని ఉన్నదంతా చెప్పింది. ఎవరూ నమ్మలేదు. నమ్మితే పని మానుకోవాలేమోనని భయపడ్డారో ఏమో.

చీకటి పడుతుండగా తలుపు కొట్టారు. కళ్లద్దాలావిడ. కొంగు తలమీదుగా కప్పుకుని ఉంది. వాళ్ల ఆడపడుచు కూడా బాలింతేనట, పాలు గడ్డకట్టి అల్లాడుతోందట. ఒక్క పూటకు పంపు కావాలంది.

"నేనడిగానని అక్కడెవరికీ చెప్పకు పిన్నీ."

పిన్ని గొట్టం, గిన్నె మళ్లీ వేణ్ణీళ్లలో వేసింది. పొద్దుటి మాటలు ఎత్తలేదు. ఆవిడ మాత్రం గుమ్మం దగ్గరే నిలబడి గోళ్లు గిల్లుకుంది.

"నువ్వు చెప్పిందంతా నిజమేనా?" అంది చివరికి.

"లోపలికి రా. పాప ఇప్పుడే పడుకుంది, మెల్లగా మాట్లాడుకుందాం," అంది పిన్ని. ఆవిడ లోపలికి వచ్చాక, వీధి అటూ ఇటూ ఒకసారి చూసి, తలుపు గడియ పెట్టింది.