గునుగు లేని జొన్నచేను

ఆ కాలంలో కొత్త ఊరికి వెళ్లినవాళ్లకు, తమకన్నా పని తెలిసినవాళ్లు అక్కడ ఉండరనే గట్టి నమ్మకం ఉండేది. మాకైతే మరీను. గుంటూరు వైపు ఉన్న కాస్త పొలం అమ్ముకుని, ఖానాపూర్ దగ్గర ఓ పల్లెలో జొన్నచేను కొనుక్కుని, మా అత్తగారు, మావారు, కొత్త కోడలినైన నేను బండి దిగాం. మొదటి పంట ఏపుగా వచ్చింది. దాంతోపాటు తెల్లటి కుచ్చుల్లాంటి పూలతో గునుగు మొక్కలూ వచ్చాయి (మా దృష్టిలో ఒట్టి కలుపు). అత్తగారూ నేనూ నడుములు పడిపోయేలా పీకి, గేదెకు వేశాం. దారినపోయేవాళ్లు ఆగి చూస్తుంటే మెచ్చుకుంటున్నారనుకుని నేను కొంగు కూడా సర్దుకునేదాన్ని.

బతుకమ్మ పండుగకు ముందురోజు ఊరి ఆడవాళ్లు గంపలతో మా చేనుకు వచ్చారు. ముందు నడిచింది పక్కింటి పెద్దవ్వ. ఊళ్లో కోతకు వెళ్లే ఆడవాళ్లంతా ఆమె మాట మీదే కదిలేవారు. "గునుగు పువ్వేదమ్మా?" అంది. "ఒక్క మొక్క లేకుండా తీసేశామండీ, ఎంత శుభ్రంగా ఉందో చూడండి!" అన్నారు అత్తగారు గర్వంగా. పెద్దవ్వ చేనుకేసి చూసింది, మాకేసి చూసింది. "ఏటేటా గీ చేన్లకెల్లే ఊరందరి బతుకమ్మకు పువ్వు వోతది. ఏం జేసిన్రు దాన్ని?" అత్తగారు నోరు తెరిచేలోపే "గేదె తినేసింది" అన్నాను (నిజం చెప్పడానికి అంత తొందరేమిటో!). "బతుకమ్మ పువ్వును బర్రెకు వెట్టిన్రా!" అన్నారెవరో. ఎవరూ నవ్వలేదు. ఖాళీ గంపలతో వెనక్కి వెళ్లిపోయారు. కోత దగ్గర పడుతోంది. వాళ్లు రాకపోతే పంట పిట్టలపాలేనని నాకు నిజంగానే భయం వేసింది.

మర్నాడు పొద్దున్నే అత్తగారు నన్ను వెంటబెట్టుకుని పెద్దవ్వ వాకిట్లో నిలబడ్డారు. "తెలియక చేశాం. పువ్వు ఎక్కడుందో చూపించండి, మేమే కోసుకొస్తాం" అన్నారు. పెద్దవ్వ గంప అందుకుని గుట్ట దిక్కు నడిచింది. అక్కడ గునుగు విరబూసి ఉంది. నేను ఉత్సాహంగా వంగి, అలవాటు కొద్దీ మొదటి మొక్కను వేళ్లతో సహా పీకేశాను. "ఓ పిల్లా! పువ్వు కొయ్యమంటే మల్ల కలుపు దీస్తున్నవా?" అంటూ పెద్దవ్వ విరగబడి నవ్వింది. అత్తగారూ నవ్వారు, ఆ ఊరికి వచ్చాక మొదటిసారి.

సాయంత్రం బతుకమ్మ చుట్టూ నన్నూ నిలబెట్టారు. పాట రాదు, అడుగు రాదు. అందరూ వంగినప్పుడు లేచి, అందరూ లేచినప్పుడు వంగి, ముందున్నామెను ఢీకొట్టాను. పెద్దవ్వ నా భుజం పట్టుకుని తిప్పుతూ, "మీ జొన్న కోతకు మేమొస్తం, ఫికర్ జెయ్యకు. ముందుగాల గీ చప్పట్లు సక్కగ గొట్టు" అంది. వాళ్లు వచ్చారు, పంట ఇంటికి చేరింది. చప్పట్లు ఎన్నేళ్లకు కుదిరాయో చెప్పను గాని, అడుగడుగునా తప్పుతూ, అయినా వలయం వదలకుండా తిరిగిన ఆ కొత్త కోడలిని తలుచుకుంటే నాకిప్పటికీ ముద్దొస్తుంది.