నిలబడే ఉద్యోగం

నల్లకోటు కొత్తగా కుట్టించుకున్న ఆ రోజుల్లో నా లెక్కన లోకంలో రెండు రకాల మనుషులే ఉండేవాళ్లు. లా చదివినవాళ్లు, చదవనివాళ్లు. చదివినవాళ్లలో నేనున్నాను కాబట్టి ఆ విభజన నాకు చాలా న్యాయంగా తోచేది. మా బాపు లెక్కలో కూడా రెండు రకాలే. కూర్చుని పని చేసేవాళ్లు, నిలబడి పని చేసేవాళ్లు. ఆయన మొదట పత్తిచేలో నిలబడ్డాడు, తర్వాత వాడపల్లి వైపు సిమెంటు బస్తాలు మోస్తూ నిలబడ్డాడు, ఆ పైన మా తండాకి దగ్గర్లో దామరచర్ల కరెంటు ప్లాంటు కడుతుంటే అక్కడ కూలికి కుదిరి మళ్లీ నిలబడ్డాడు. పత్తిచేలో ఉన్న రోజుల్లోనే, నేను పుట్టినప్పుడు 'ఈ పిల్ల కూసోని బతకాలె' అని ఒట్టు పెట్టుకున్నాడట. (మేం ఇంట్లో మాట్లాడుకునేది లంబాడీ. మీ కోసం తెలుగులోకి తెచ్చి రాస్తున్నాను. తెలుగులో మా బాపు కాస్త మెత్తగా వినిపిస్తాడు, అసలు మనిషి అంత మెత్తన కాదు.)

సూర్యాపేటలో డిగ్రీ, నల్గొండలో లా పూర్తి చేసి నేను తండాకి తిరిగొచ్చాక, నన్నేం చేయాలన్న విషయం మీద మా ఇంటి ముందు పెద్ద సభ జరిగింది. ముఖ్య అతిథి మా సూర్యాపేట మామ. అమ్మకి తమ్ముడు. రిజిస్ట్రారు ఆఫీసు ఎదురుగా దస్తావేజులు టైపు చేసే మనిషి కాబట్టి చట్టానికి సంబంధించిన సంగతుల్లో మా తండాకంతటికీ ఆయనే సుప్రీంకోర్టు. లా చదివినోళ్లు ఏమేం కావచ్చో ఆయన ఒక్కొక్కటే చెబుతుంటే, బాపు ప్రతిదానికీ ఒకటే ప్రశ్న వేశాడు.

"జడ్జి పరీక్ష రాయొచ్చు బావా."

"కూసునుడా, నిలబడుడా?"

"జడ్జి కూసుంటడు. జడ్జే కూసోకపోతే ఇగ కోర్టుల ఎవరు కూసుంటరు?"

"మంచిగున్నది. ఇంకా?"

"సర్కారు దిక్కు కేసులు చెప్పే పీపీ కావొచ్చు. గాని నిలబడాలె. లా కాలేజీల పాఠం చెప్పొచ్చు, అదీ నిలబడుడే. కొన్నేండ్లు పోయినంక నోటరీ అయితే కూసోవచ్చు, కోర్టు బయట గొడుగు ఏసుకోని. బ్యాంకుల, కంపెనీల లా ఆఫీసర్లుంటరు సూడు, వాళ్లు మస్తుగ కూసుంటరు. ఏసీల."

"మరి వకీలు?"

నేను మామ వైపు చూసి కళ్లతోనే బతిమాలాను. మామ చూశాడు, చూసి కూడా నిజమే చెప్పాడు. "వకీలు నిలబడాలె బావా. పొద్దుందాక నిలబడాలె."

బాపు ముఖం మాడిపోయింది. "గింత చదివి మళ్ల నిలబడే పనేనా?" అన్నాడు. ఆయనకి అప్పటికే ఒక ఆలోచన ఉంది. మఠంపల్లి దగ్గర ఏదో సిమెంటు ఫ్యాక్టరీ ఆఫీసులో లా చదివిన ఆడపిల్ల కావాలట, కాయితాలు చూసే పని, కుర్చీ తిరుగుతుందట. తెలిసిన సూపర్‌వైజర్ మాటిచ్చాడు. నాకేమో కోర్టు తప్ప ఇంకేదీ కంటికి ఆనడం లేదు. మిర్యాలగూడ కోర్టులో మొదటిసారి అడుగుపెట్టిన రోజు, జడ్జి వస్తుంటే అంతమంది ఒక్కసారిగా లేచి నిలబడి, ఎక్కడా చిన్న చప్పుడు లేకపోవడం చూసి నా ఒళ్లు జలదరించింది. అంతవరకు ఒకరు అరవకుండా మాట్లాడి, మరొకరు వినే తగాదాని నేను చూడలేదు. ఇక్కడ ఒకరు చెబుతుంటే ఎదుటివాడు ఆగుతున్నాడు! ఈ అద్భుతాన్ని వదిలి తిరిగే కుర్చీలో కూర్చోవాలా?

నేను ఏడ్చి, అన్నం మానేసి (మధ్యాహ్నం దాకానే) మొత్తానికి మిర్యాలగూడలో ఒక సీనియర్ దగ్గర జూనియర్‌గా చేరాను. ఆయన్ని కోర్టులో అందరూ మెల్లగ సార్ అనేవాళ్లు. ఏం అడిగినా "మెల్లగ" అనేవాడు. కేసులు కూడా ఆ పేరుకి తగ్గట్టే నడిచేవి. బాపు మాత్రం పట్టు పూర్తిగా వదల్లేదు. "ఒకనాడు నేనే వచ్చి సూస్త. నువ్వు చేసేది పనిలెక్క కనబడితే ఉండు. లేకుంటే ఆ సోమారమే మఠంపల్లి," అన్నాడు. ఏ రోజు వస్తాడో కూడా ఆయనే చెప్పాడు. ఆ రోజు సీనియర్ పక్కన నిలబడి, దళసరి పుస్తకాలు తెరిచి అందిస్తూ, మధ్యలో ఆయన చెవిలో ఏదో చెబుతూ బాపు కళ్లు చెదిరేలా చేయాలని నేను లోలోపల పథకం వేసుకున్నాను.

సరిగ్గా ఆ రోజు పొద్దున్నే సీనియర్ ఫోన్ చేశాడు.

"నేను కోదాడ కోర్టుల ఉన్నమ్మా ఇయ్యాల. మన గట్టు తగాదా కేసు పిలుస్తరు. లేసి వాయిదా అడుగు, అంతే."

"అంతేనా సార్? ఇవాళ మా బాపు నన్ను చూడ్డానికి వస్తున్నాడు. ఇంకేదైనా పెద్దది..."

"వాయిదా అడుగుడు అల్కగ అనుకుంటున్నవా? కొత్త జడ్జి మేడమ్‌కు వాయిదాలంటే పడదు. మెల్లగ, మర్యాదగ అడుగు," అని పెట్టేశాడు.

నా జీవితం తేలిపోయే రోజున నేను కోర్టులో అనబోయేది ఒక్క వాక్యం. మా సీనియర్ కోదాడ కోర్టులో ఉన్నారు, దయచేసి దగ్గర తేదీకి వాయిదా ఇప్పించండి. దాన్ని ఇంగ్లీషులో పెట్టుకుని దామరచర్ల నుంచి మిర్యాలగూడ దాకా బస్సులో పెదాలు కదుపుతూ కూర్చున్నాను. పక్కనున్న పెద్దావిడ కాసేపు చూసి, "ఏ సామి మంత్రం బిడ్డా? జర నాక్కూడా చెప్పరాదు," అంది. (చెప్పాను కూడా. ఆవిడ కళ్లు మూసుకుని విని దండం పెట్టుకుంది.)

'ఒక్కన్నే వస్త' అన్న బాపు ట్రాలీ ఆటోలో దిగాడు. ఆయన వెనక యాడి దిగింది, అంటే మా అమ్మ. ఆమె వెనక ఇద్దరు కాకీలు, అంటే మా చిన్నమ్మలు, ఎర్ర తలపాగా చుట్టిన మా తండా పెద్ద నాయక్, ఆయన తమ్ముళ్లు, చివర్న ఇద్దరు చేతులు పట్టుకుని దింపితే మా దాదీ. బాపు తల్లి. ఆమె పెండ్లిళ్లకి కట్టే అద్దాల బట్టలు వేసుకుంది, మోచేతుల పైదాకా గాజులు, కాళ్లకి కడియాలు. ఎండలో కోర్టు ఆవరణంతా ఆమె అద్దాల మెరుపులే. చంకలో జొన్నరొట్టెల మూట. "గిందరెందుకు బాపూ?" అని నేను గొణిగితే, "నేనేం పిలిచిన్నా? మన పిల్ల కోర్టుల మాట్లాడుతదట అంటే ఆటో నిండింది," అన్నాడు బాపు నేల చూస్తూ.

నేను మాట్లాడబోయేది ఎంతో వాళ్లకి చెప్పే ధైర్యం నాకు లేకపోయింది. లోపలికి వచ్చేటప్పుడు చప్పుడు చేయొద్దని, ముందు నేను చేసినట్టు చేయమని మాత్రం చెప్పాను. అదే కొంప ముంచింది. వకీళ్లం కోర్టు హాల్లోకి అడుగుపెట్టగానే జడ్జి వైపు తల వంచి నమస్కరిస్తాం, జడ్జి కూడా తల ఊపుతారు. నేను తల వంచాను, మేడమ్ తల ఊపింది. నా వెనక బాపు గడప దగ్గర ఆగి తల వంచాడు. మేడమ్ కాగితాల నుంచి చూపెత్తి మళ్లీ ఊపింది. తర్వాత యాడి. తర్వాత కాకీలు. నాయక్ తలపాగా తీసి, వంగి, మళ్లీ పెట్టుకుని మరీ వచ్చాడు. దాదీ వంగితే గాజులూ కడియాలూ అద్దాలూ అన్నీ కలిసి వంగాయి. బల్ల దగ్గరున్న గుమస్తా వేలు పెట్టుకున్న పేజీ మర్చిపోయాడు. మేడమ్ ఆ చివరిదాకా తల ఊపుతూనే ఉంది. నేను కోటు కాలర్లోకి దూరిపోదామని చూశాను. దర్జీ 'ముందు ముందు లావైతవు' అని వదులుగా కుట్టాడు కాబట్టి చాలావరకు వీలైంది కూడా.

ఆమె నాకంటే మరీ పెద్దదేం కాదు, ఆ మేడమ్. కానీ ఆమె గొంతు తగ్గించి అడిగితే పెద్ద పెద్ద వకీళ్లు నీళ్లు నమలడం నేను చూశాను. మా కేసు పిలిచారు. నేను లేచాను.

వెనక నుంచి ఘల్లుమని ఒక చప్పుడు. నేను తిరిగి చూడక్కర్లేకుండానే తెలిసింది. తండా మొత్తం నాతో పాటు లేచి నిలబడింది.

బస్సులో పెద్దావిడకి కూడా నేర్పిన నా వాక్యం నోట్లోంచి మాయమైంది. మేడమ్ కలం కింద పెట్టింది. అటెండర్ వాళ్ల వైపు పరుగెత్తబోతే చెయ్యెత్తి ఆపింది.

"ఎవరు మీరంతా? ఈ కేసులో పార్టీలా?"

బాపు సూపర్‌వైజర్ ముందు నిలబడినట్టు చేతులు కట్టుకుని నిలబడ్డాడు. జవాబు దాదీ చెప్పింది, ఆమెకి వచ్చిన కాస్త తెలుగులో.

"కాదు తల్లీ. మా పిల్ల లేసింది. మా పిల్ల నిలబడ్డంక మేమెట్ల కూసుంటం?"

 నా ఉద్యోగం అయిపోయింది, సీనియర్ పరువు పోయింది, మఠంపల్లి తిరుగుడు కుర్చీ నా కళ్ల ముందు తిరుగుతోంది. మేడమ్ తల వంచి కాసేపు కాగితాలే చూసింది. మళ్లీ తలెత్తినప్పుడు ఆమె ముఖం ఎప్పటిలాగే ఉంది కానీ కళ్లలో నవ్వు దాగుంది.

"కోర్టులో ఆమె నిలబడితే చాలమ్మా," అంది మెల్లగా. "మీ అందరి తరఫునా ఆమే నిలబడుతుంది. మీరు కూర్చోండి." తర్వాత బాపు వైపు చూసి, "మీరు కూడా. కూర్చోండి," అంది.

మా బాపుని ఒక ఆఫీసరు కూర్చోమనడం నేనప్పుడే మొదటిసారి చూశాను. ఆయన వెనక్కి బెంచీని చేత్తో తడిమి, ఉందని నమ్మకం కుదిరాక, అంచు మీద కూర్చున్నాడు.

నేను వాక్యం మొదలుపెట్టాను. సగం ఇంగ్లీషులో వచ్చింది, సగం తెలుగులో, కోదాడ కాస్తా సూర్యాపేట అయి మళ్లీ కోదాడ అయింది. ఎదుటి వకీలు కోదాడ వైపు పెద్దాయన. "మాకేం అభ్యంతరం లేదండీ. అమ్మాయి వెనకున్న బలగం చూశాక ఎవరికుంటుంది?" అన్నాడు. ఈసారి మేడమ్ నిజంగానే నవ్వింది. "ఇదే చివరి వాయిదా అని మీ సీనియర్‌కి చెప్పండి," అని, తేదీ చెప్పి, కలం తీసుకుని రాసుకుంది. అంతే. నా కోర్టు జీవితంలో మొదటి విజయం కాగితం మీద ఒక గీత కంటే ఎక్కువుండదు. బయటికి వెళ్లేటప్పుడు మళ్లీ అందరూ గడప దగ్గర ఆగి ఒక్కొక్కరే తల వంచారు. మేడమ్ ఒక్కరినీ వదలకుండా తల ఊపింది.

కోర్టు క్యాంటీన్ పక్కన నీడలో కూర్చుని జొన్నరొట్టెలు తిన్నాం.  పెద్ద గుడికి పోయి వచ్చినవాళ్లలా ఉన్నారు అందరూ. ఇక దాచి లాభం లేదని నేనే అన్నాను. "బాపూ, నేను ఏ కేసూ గెలవలేదు. వాయిదా అడిగిన, ఇచ్చిన్రు. అది అందరికీ ఇస్తరు."

బాపు రొట్టె నములుతూనే ఉన్నాడు. "మఠంపల్లి ఆఫీసుల నువ్వు మాట్లాడితే ఎవరన్న రాసుకుంటరా?" అన్నాడు చివరికి.

"లేదు. వాళ్లు చెప్తే నేను రాసుకోవాలె."

"నేను లీవు అడిగితే సూపర్‌వైజర్ ఫోన్ల నుంచి తల గూడ ఎత్తడు. నువ్వడిగితే సర్కారు కలం పట్టి రాసింది."  చెయ్యి దులుపుకుని లేచాడు. "కూసునే పని ఇంకెవరికన్న ఇయ్యమని చెప్త. నువ్వు నిలబడు."

ఆ సోమవారం నేను మఠంపల్లి వెళ్లలేదు. జడ్జి పరీక్ష ఒకసారి రాశాను, రాలేదు. సూర్యాపేట మామ ఇప్పటికీ ఆ సంగతి కదుపుతూనే ఉంటాడు. ఇప్పుడు మిర్యాలగూడలో నాకు సొంత ఆఫీసుంది, ఇద్దరు జూనియర్లున్నారు, మోకాళ్ల నొప్పులున్నాయి. దవాఖానలో డాక్టరు ఎక్కువసేపు నిలబడొద్దంటే నాకు నవ్వొచ్చింది. పని మానేసిన బాపు వారంలో సగం రోజులు వచ్చి మా ఆఫీసులో కక్షిదారుల కుర్చీలో వెనక్కి ఆనుకుని, కాళ్లు చాపుకుని కూర్చుంటాడు. ఎవరొచ్చినా లేవడు. దాదీ మాత్రం ఇప్పుడు లేదు.

కోర్టులో నేను లేచాక వెంటనే మాట్లాడను, ఒక్క క్షణం ఆగుతాను. అది నా స్టైల్ అని జూనియర్లు అనుకుంటారు, ఒకమ్మాయి అద్దం ముందు ప్రాక్టీసు కూడా చేస్తోందని విన్నాను. స్టైలూ లేదు, ఏమీ లేదు. ఆ వదులు కోటు పిల్ల ఇంకా నాలోనే ఉంది. వెనక వాళ్లంతా కూర్చున్నాకే ఆమె మాట్లాడుతుంది.