నెలన్నర ఆలస్యంగా ఐర్లండ్

మా ఇంట్లో ఐర్లండ్ ఎప్పుడూ నెలన్నర ఆలస్యంగా నడిచేది. సికింద్రాబాద్‌లో రెజిమెంటల్ బజార్ వెనక సందులో మాది పెంకుటిల్లు. నాన్న గుంటూరు వైపు నుంచి వచ్చి మిషన్ బడిలో లెక్కల మాస్టారుగా కుదురుకున్నారు. అదే బడిలో ముప్పై ఏళ్ళు ఇంగ్లిష్ చెప్పి రిటైరైన ఐరిష్ టీచరమ్మ మా ముందు గదిలో ఉండేవారు. ఆవిణ్ణి దొరసాని అంటే ఒప్పుకునేవారు కాదు. "దొరసానులు ఇంగ్లండ్ నుంచి వస్తారు. నేను ఐర్లండ్ నుంచి వచ్చాను" అని పాలవాడిక్కూడా గుమ్మంలో నిలబెట్టి పాఠం చెప్పారు. ఆ తేడా ఏమిటో అతనికి అర్థం కాలేదు గానీ ఆ రోజు నుంచి "ఐర్లండ్ అమ్మగారు" అనడం మొదలుపెట్టాడు.

ఆవిడకు వాళ్ళ ఊరి నుంచి అక్కగారు దినపత్రికలు పంపేవారు. రెండు వారాల పత్రికలు ఒక కట్టగా పురికొసతో బిగించి ఓడలో వేస్తే, బొంబాయి మీదుగా మా సందుకు చేరేసరికి నెలన్నర అయ్యేది. అందులో ఉత్తరం ముక్క ఉండేది కాదు. వాళ్ళింట్లో అందరూ ఇంగ్లండ్ రాజుగారి పక్షం. ఈవిడ ఒక్కతే రిపబ్లిక్ కావాలన్న మనిషి. అక్కాచెల్లెళ్ళ మధ్య మిగిలిన బంధుత్వం ఆ పురికొస ముడి ఒక్కటే.

ఆ కట్టకు మా ఇంట్లో ఒక కట్టుబాటు ఉండేది. పత్రికలన్నీ తేదీల వారీగా పేర్చి, రోజుకు ఒకటి చొప్పున, సాయంత్రం నాలుగు గంటల టీతో చదవాలి. తర్వాతి తేదీ పత్రికలోకి తొంగి చూడటం నేరం. టీచరమ్మ కళ్ళకు శుక్లాలు కమ్మాక చదివే పని నాకు వచ్చింది. అప్పుడు నాకు పదహారేళ్ళు. ముందు సంపాదకీయం, తర్వాత పార్లమెంటు, ఆ తర్వాత చావులు, చివర పశువుల సంత. ఉచ్చారణ తప్పితే ఆవిడ కప్పు కింద పెట్టేవారు, నేను మళ్ళీ చదివేదాన్ని. నా ఇంగ్లిష్ అంతా ఆ కప్పు చప్పుడుకు భయపడి నేర్చుకున్నదే.

ప్రతి శనివారం రైల్వేలో గార్డుగా చేసి రిటైరైన ఒక ముసలాయన టీకి వచ్చేవాడు. ఆయనా ఐరిషే. అయితే పార్టీ వేరు. సొంత ప్రభుత్వం వచ్చినా రాజుగారు పైనే ఉండేలా ఇంగ్లండ్‌తో కుదిరిన సంధి పత్రం మీద సంతకం పెట్టి, ఆ తర్వాత సొంత దేశస్థుల తూటాకే చిన్న వయసులో పోయిన నాయకుడు గార్డుగారికి దేవుడు. ఆ సంధిని ఒప్పుకోనని ఎదురు తిరిగి, తర్వాత పదహారేళ్ళు ఏకధాటిగా దేశాన్ని ఏలిన కళ్ళద్దాల పొడుగాయన టీచరమ్మకు దేవుడు. ఆ పొడుగాయన ఫొటో ఆవిడ గదిలో గోడకు, వరండాలోకి కనిపించేలా ఉండేది. గార్డుగారు వస్తూనే కుర్చీని తిప్పి, ఫొటోకు వీపు పెట్టి కూర్చునేవాడు. ఆ తర్వాత రెండు గంటలు వాళ్ళ పోట్లాట. పాతికేళ్ళ కింద తమ దేశంలో జరిగిన అంతర్యుద్ధాన్ని మా వరండాలో ప్రతి వారం మళ్ళీ మొదలుపెట్టేవారు. ఆరు కొట్టగానే ఆయన టోపీ పెట్టుకుని, "వచ్చే శనివారం వస్త" అని వెళ్ళేవాడు.

గార్డుగారికీ విడిగా పత్రికల కట్ట వచ్చేది. ఆయనకు ఓపిక తక్కువ, కట్ట విప్పి చివరి పత్రిక ముందు చదివేసేవాడు. కాని టీచరమ్మ ఏ తేదీకి చేరితే ఆ తేదీ కబురే ఆవిడ ముందు ఎత్తాలి. అది మా వరండా చట్టం. ఆ ఏడాది, అంటే నలభై ఎనిమిది మొదట్లో జరిగిన ఎన్నికల్లో పొడుగాయన ఓడిపోయిన సంగతి ఆయనకు పది రోజుల ముందే తెలిసినా నోరు మెదపలేదు. సరిగ్గా ఆవిడ ఆ పత్రిక చదివించుకున్న సాయంత్రం, అది మంగళవారమైనా, ప్లమ్ కేకు పట్టుకుని హాజరయ్యాడు. టీచరమ్మ కేకు తిన్నారు గాని వారం రోజులు ఆయనతో మాట్లాడలేదు. గార్డుగారి పార్టీ ముందుండి అయిదారు పార్టీలతో కట్టిన కొత్త ప్రభుత్వానికి ఆవిడ ఖిచిడీ అని పేరు పెట్టారు. ఓడిన పొడుగాయన ఆ వేసవిలో దేశాలు తిరుగుతూ ఢిల్లీకి కూడా వచ్చాడట. మన నిజాం సంస్థానానికీ ఢిల్లీకీ పడని రోజులు, రాకపోకలు కష్టం. "ఇంత దూరం వచ్చి నన్ను చూడకుండా వెళ్ళాడు చూశావా" అని ఆవిడ ఫొటో మీద అలిగారు.

ఇక అసలు సంగతి ఆవిడ మంచం కింద ఉండేది. అది ఒక రేకు ట్రంకు పెట్టె. ముప్పై ఏళ్ళ కింద ఓడ ఎక్కిన రోజు ఆవిడ ఒట్టు పెట్టుకున్నారు. ఐర్లండ్ రిపబ్లిక్ అయిన రోజే తిరిగి వెళ్తాను, అంతదాకా ఆ గడ్డ మీద కాలు పెట్టను అని. ఎన్ని సెలవులు వచ్చినా వెళ్ళలేదు. ఆ పెట్టె వైపు చూసినప్పుడల్లా నాకు గుబులుగా ఉండేది. ఆవిడ వెళ్ళిపోతే ఆ నాలుగు గంటల టీ ఉండదు, నాకు ఇంగ్లిష్ ఉండదు, మా ఇంట్లో ఆవిడ ఉండరు. "పదహారేళ్ళలో వాళ్ళ నాయకుడే ఆ మాట ప్రకటించలేదు, ఇంకెవరు ప్రకటిస్తారమ్మా" అని నాన్న నాకు ధైర్యం చెప్పేవారు.

అంతలో పోలీస్ యాక్షన్ వచ్చింది. కొన్ని రోజులు తలుపులు మూసుకుని, విమానాల మోత వింటూ, పప్పుచారుతో గడిపాం. ఆ తర్వాత మిలిటరీ లారీలు బజారు మీదుగా వెళ్ళాయి, జనం మేడల మీదికెక్కి చూశారు. మరునాటి నుంచి ఊరంతా మూడు రంగుల జెండాలకు ఎగబడింది. మా సందు మొదట్లో ఉండే దర్జీ సాబ్‌కు తల గోక్కోవడానికి కూడా తీరిక లేదు. ఆయన భార్య, కోడలు, అందరూ చక్రాలు కుట్టడంలోనే ఉన్నారు. ఈ గొడవలో ఆగిపోయిన టపా ఒక్కసారిగా కదిలి, టీచరమ్మకు మూడు కట్టలు ఒకేసారి వచ్చాయి.

రెండో కట్ట సగంలో నా ప్రాణం మీదికి వచ్చింది. ఆ రోజు పత్రిక విప్పగానే పెద్ద అక్షరాలు. ఖిచిడీ ప్రభుత్వం ప్రధాని కెనడా వెళ్ళి, అక్కడ విలేకరుల ముందు, ఇంగ్లండ్ రాజుతో మిగిలిన ఆ కాస్త లంకె కూడా తెంపేసి రిపబ్లిక్ అవుతున్నామని చెప్పేశాడు. మా ఊళ్ళోకి సైన్యం వచ్చిన రోజులకు కాస్త ముందరే అక్కడ ఇది జరిగింది. నేను పత్రిక పట్టుకుని అలాగే ఉండిపోయాను.

"చదవవేం అమ్మాయీ" అన్నారు టీచరమ్మ.

"అచ్చు సరిగ్గా పడలేదండీ" అన్నాను, జీవితంలో ఆవిడతో ఆడిన మొదటి అబద్ధం. పేజీ తిప్పి పశువుల సంత చదివాను.

ఒక్క రోజుతో పోతుందనుకున్నాను. కాని మరునాడు పత్రికలోనూ అదే, ఆ మరునాడూ అదే. సంపాదకీయం వదిలేశాను. పార్లమెంటు వదిలేశాను. చావులు రెండేసి సార్లు చదివాను. వానలు, పాదిరుల ప్రసంగాలు, బహుమతి పొందిన ఎద్దులు, ఏది దొరికితే అది చదివాను. "మా దేశంలో ఈ మధ్య చావులు ఎక్కువయ్యాయి" అన్నారు ఆవిడ ఒక రోజు. నేను గబగబా పశువుల సంతకు పేజీ తిప్పాను.

శనివారం గార్డుగారు వచ్చాడు. పత్రిక తేదీ దాటిపోయింది, మా వరండా చట్టం ప్రకారం ఆయన నోరు విప్పవచ్చు. పైగా రిపబ్లిక్ తెచ్చింది ఆయన పార్టీ. ఈసారి కేకు కాదు, బ్యాండ్ మేళమే తెస్తాడనుకున్నాను. ఆయన ఉత్త చేతులతో వచ్చి, ఫొటోకు వీపు పెట్టి కూర్చుని, రెండు గంటలు మోకాళ్ళ నొప్పుల గురించి మాట్లాడాడు. మరుసటి శనివారం బొగ్గు ఇంజన్ల గురించి మాట్లాడాడు. మూడో శనివారం నేను ఆగలేక గేటు దగ్గర పట్టుకుని, రిపబ్లిక్ సంగతి తెలియదా అని అడిగేశాను. రైల్వే గ్యాంగ్ మనుషుల దగ్గర నేర్చుకున్న తెలుగు ఆయనది.

"నాకెరికనే బిడ్డా" అన్నాడు టోపీ చేతిలో తిప్పుతూ. "అందరికంటె ముందే ఎరిక. చెప్పుతె ఆమె పోతది. ఆమె పోతె శనివారం నేను ఎవ్వల్తోని లొల్లి పెట్టుకోవాలె?"

తన పార్టీ జన్మలో సాధించిన అతి పెద్ద గెలుపు గురించి ఒక్క మాట కూడా అనకుండా ఆ మనిషి మూడు వారాలు నోరు కట్టేసుకున్నాడు. ఆ రోజు నుంచి గార్డుగారంటే నాకు ఎంత ఇష్టమో చెప్పలేను.

ఆ సోమవారం దర్జీ సాబ్ చంకలో పొట్లంతో వచ్చాడు. నా జాకెట్టేమో అనుకున్నాను. విప్పితే జెండా, ఎర్రకోటకు సరిపోయేంత నీటుగా కుట్టిన మన జెండా. కాని ఆయన నాన్నను పక్కకు పిలిచి సంజాయిషీ మొదలుపెట్టాడు.

"అమ్మగారు ఆర్డర్ ఇచ్చిన్రు మాస్టర్ సాబ్. ఆకుపచ్చ, తెలుపు, నారింజ, మూడు పట్టీలు నిలువుగ కుట్టు అన్నరు. జెర పరేషాన్ అయిన. ఊరంత అడ్డంగ కుట్టిపిచ్చుకుంటుంటే ఈమెకు నిలువుగ ఎందుకు? కండ్లు సరిగ కనవడ్తలేవు గద, ఉల్టా చెప్పిన్రని నేనే సరిచేసిన. నారింజ మీదికి తెచ్చిన. చక్రం సుత కుట్టిన, అది నా తరఫున."

 ఆకుపచ్చ, తెలుపు, నారింజ నిలువుగా ఉంటే అది ఐర్లండ్ జెండా. అంటే ఆవిడకు తెలుసు.

టీచరమ్మ జెండాను ఒళ్ళో పరుచుకుని వేళ్ళతో తడిమారు. చక్రం దగ్గర వేళ్ళు ఆగాయి. దాని ఆకులు ఒక్కొక్కటీ తడిమి, కళ్ళ నీళ్ళు వచ్చేదాకా నవ్వారు. దర్జీ సాబ్‌కు బిస్కెట్లు పెట్టి పంపాక నన్ను పిలిచారు.

"ముప్పై ఏళ్ళు పిల్లల చేత పాఠాలు చదివించాను. ఎవరు ఏ పేజీ ఎగరగొట్టారో నాకు తెలియదా? సంపాదకీయం లేకుండా పత్రిక ఎక్కడైనా అచ్చవుతుందా? నువ్వూ ఆ గార్డూ ఇద్దరూ దాచే కబురు రిపబ్లిక్ తప్ప ఇంకేముంటుంది?"

నేను ఏడ్చేశాను. వెళ్ళిపోతారని భయమేసిందని చెప్పాను. ఆవిడ నా తల మీద చెయ్యి వేశారు గాని వెళ్తాననీ అనలేదు, వెళ్ళననీ అనలేదు. "అనడం వేరు, అవడం వేరు. అయిన రోజు చూద్దాం. ఎగరగొట్టిన పత్రికలన్నీ మొదటి నుంచి చదువు, రోజుకొకటి."

అలా ఆర్నెల్లకు పైగా నేనే నా నోటితో ఆ రోజును దగ్గరికి తెచ్చాను. పార్లమెంటులో బిల్లు చదివాను, చర్చ చదివాను, చట్టం చదివాను. సెలవుల్లో అమ్మ ఆ ట్రంకు పెట్టె తుడిచి ఎండలో పెడితే, నేను సాయంత్రం కాకముందే దాన్ని మళ్ళీ మంచం కిందికి తోసేశాను. చివరికి ఎండలు దంచేస్తున్న ఒక శనివారం ఆ పత్రిక వంతు వచ్చింది. ఈస్టర్ మర్నాడు రిపబ్లిక్ పుట్టింది, ఫిరంగులు పేలాయి, వీధుల్లో జనం. గార్డుగారు కుర్చీ అంచున కూర్చుని నేల చూస్తున్నాడు.  నేను ఒక్క ముక్క కూడా ఎగరగొట్టకుండా చదివాను. చివర చిన్న అక్షరాల్లో ఉంది. ఉత్తరపు జిల్లాలు ఇంగ్లండ్ చేతిలోనే ఉండి ద్వీపం ఇంకా రెండు ముక్కలుగానే ఉందని పొడుగాయన, ఆయన పార్టీ ఆ వేడుకలకు రాలేదట.

టీచరమ్మ కప్పు కింద పెట్టారు. నేను తప్పు చదివానేమోనని మళ్ళీ చదివాను.

"విన్నాను" అన్నారు. "నా నాయకుడే వెళ్ళని పండక్కి నేనెలా వెళ్తాను? మర్యాదగా ఉండదు."

 గార్డుగారు తల ఎత్తి, "నీ నాయకుడు మొండోడు" అన్నాడు. "నీ పార్టీ దొంగ పార్టీ. మా రిపబ్లిక్‌ను కొట్టేసింది" అన్నారు ఆవిడ. నాకు అంత సంతోషం ఆ తర్వాత మెట్రిక్ పాసైన రోజు కూడా కలగలేదు.

అప్పుడు పెట్టె బయటికి లాగించారు. అందులో చిమ్మెటలు కొట్టిన కోటు ఒకటి, కాగితంలో చుట్టిన తోలు బూట్ల జత ఒకటి. రిపబ్లిక్ గడ్డ మీద మొదటి అడుగు వేయడానికని ఓడ ఎక్కేముందు కొనుక్కున్నవి. అడుగున మట్టి అంటలేదు. ఆవిడ వేసుకోబోతే కాళ్ళు పట్టలేదు. ముప్పై ఏళ్ళు చెప్పులతో మా ఎండల్లో తిరిగి పాదాలు వెడల్పయ్యాయి. ఆవిడ ముఖంలో నవ్వు పోవడం ఆ ఒక్కసారే చూశాను.

గార్డుగారు మెల్లగా లేచి, నొప్పుల మోకాళ్ళ మీద నేలకు వంగి, లేసులన్నీ విప్పి, బూట్లను వీలైనంత వదులు చేసి ఆవిడ కాళ్ళకు తొడిగి కట్టాడు. అలా వంగినప్పుడు ఆయన ముఖం ఫొటో వైపే ఉంది. ఆయన ఆ సంగతి పట్టించుకోలేదు.

టీచరమ్మ నా భుజం పట్టుకుని మెట్లు దిగారు. సందులో మట్టి మీద మొదటి అడుగు వేసి, కాసేపు ఆగి, రెండోది వేశారు. అలాగే కుంటుకుంటూ దర్జీ సాబ్ కొట్టు దాకా నడిచి, జెండా చాలా బాగా కుదిరిందని చెప్పి వచ్చాం.