రికార్డులో శబ్దం లేని చోటు

1974 మే నెల, ఆదివారం, మధ్యాహ్నం మూడుంపావు. దయ్యాలను నేను ఏనాడూ నమ్మలేదు. నమ్మేవాణ్నయితే గనిలో మొదటి షిఫ్టుకే పారిపోయేవాణ్ని. నలభై దాటాక అక్షరాలు నేర్చుకున్నాను. విన్నది విన్నట్టు రాస్తాను, అంతకుమించి రాదు.

గోదావరిఖనిలో మా పక్క క్వార్టరు సామ్యూల్‌ది. గనిలో ఎలక్ట్రీషియన్. పాట ఎదుట కూర్చొని పాడినట్టు వినబడాలని యాంప్లిఫయరు, స్పీకర్లు సొంతంగా కట్టుకున్నాడు. వాటిని పరీక్షించే రికార్డొకటి హైదరాబాదు నుంచి తెప్పించాడు. అందులో ఒకచోట కాసేపు ఏ శబ్దమూ ఉండదు. అక్కడేమైనా వినబడితే లోపం యంత్రానిదే. సామ్యూల్‌కు అక్కడ గుయ్యిమనేది. తీగలన్నీ మార్చినా పోలేదు.

ఇంజను గది మోతకు అతని కుడిచెవి రెండేళ్ల కిందే పోయింది. ఎడమదీ పోతున్నదేమోనని భయం. అందుకే నన్ను పిలిచాడు. గని పైకప్పును కర్రతో తట్టి, మోతను బట్టి గట్టిదో డొల్లదో చెప్పడం నా పని.

"మోత పెట్టెలున్నదా, నా చెవులున్నదా? ఉన్నదున్నట్టు చెప్పు అన్నా."

"మా ఇంట్ల పాట విని ఏడాదైంది. ఏం లేని జాగనే వింటడు," అంది అతని భార్య మరియమ్మ, ఫ్యాను ఆపుతూ.

రికార్డు మీది ముల్లు ఆ శబ్దం లేని చోటికి వచ్చింది. గుయ్యిమనడం నాకు వినబడలేదు. ఆ మాట చెప్పబోతుంటే గని పైకప్పును కర్రతో తట్టిన చప్పుడు వచ్చింది. రెండు దెబ్బలు, ఆగి ఒకటి. అట్లా తట్టేది పనిలో నా జోడీ మల్లయ్య ఒక్కడే. ముందటేడు పైకప్పు కూలి చనిపోయాడు.

నేను ఏమీ చెప్పకముందే సామ్యూల్ ఎడమచెవిని అరచేత్తో గట్టిగా మూసుకొని, రెండో చేత్తో బల్ల మీద తట్టాడు. రెండు, ఆగి ఒకటి. అతని ముఖం చూసి మరియమ్మ ప్లగ్గు పీకింది. రికార్డు ఆగిపోయింది. తట్టుడు ఆగలేదు. ఇంకో నాలుగుసార్లు వినబడింది, మా ఇద్దరికే. గట్టి పైకప్పు మోత అది. దాని కింద నిలబడి అన్నం తినొచ్చు.

"కుడిచెవుల విన్న అన్నా," అన్నాడు సామ్యూల్. కళ్ల నిండా నీళ్లు.

"పెట్టె మంచిగనే ఉన్నది తమ్మీ. గుయ్యిమనేది నీ చెవులనే. రేపు దవాఖానకు పోదాం."

కుడిచెవి పూర్తిగా చచ్చిపోయిందని, ఎడమది సగం మిగిలిందని డాక్టరు తేల్చాడు. సామ్యూల్‌కు మోత లేని చోట డ్యూటీ వేశారు. ఆ వారమే ఇంట్లో మళ్లీ పాటలు పెట్టాడు.

చచ్చిన చెవి ఎట్లా విన్నదో ఇప్పటికీ నాకు తెలియదు.

ఆ రోజు గదిలో ఉన్నవాళ్లం: రాజయ్య అనే నేను, సామ్యూల్, మరియమ్మ. మల్లయ్య పేరు కూడా రాయమన్నాడు సామ్యూల్. రాశాను.