అరటిపండ్ల అర

మా బావకి సర్దడం ఒక జబ్బు. ఇంట్లో అందరం ఆయన్ని సర్దుడు బావ అంటాం. ఎదురుగానే అంటాం, ఆయనకది బిరుదు. కళ్లద్దాల షాపు నడుపుతాడు. అక్కడ ఫ్రేములన్నీ రంగు ప్రకారం, ఒక్కో రంగులో మళ్లీ సైజు ప్రకారం వరసగా ఉంటాయి. వచ్చినవాళ్లు ఒక ఫ్రేము తీసి చూసి పక్క చోట పెడితే, బావ వాళ్ల మాట వింటూనే, నవ్వుతూనే, చెయ్యి చాచి దాన్ని దాని చోటికి చేరుస్తాడు. ఒకసారి ఒక పెద్దాయన తన సొంత కళ్లద్దాలు తీసి బల్ల మీద పెట్టి అక్షరాల బోర్డు చదువుతుంటే, బావ వాటిని కూడా అరలో సర్దేశాడు. పాపం ఆయనకి అవి వెతుక్కోవడానికి కళ్లద్దాలు లేవు.

ఇంట్లోనూ అంతే. చెంచాలు పొడవు ప్రకారం ఉంటాయి. చార్జర్ల తీగలు చుట్టలు చుట్టుకుని పడుకుంటాయి. దువ్వెన ఒక అంగుళం జరిగితే ఎవరు దువ్వుకున్నారో విచారణ మొదలవుతుంది. మా అక్క ఎప్పుడో అంది, సర్దడం ఆయన వంతు, సర్దుకుపోవడం తన వంతు అని. నవ్వుతూనే అంది కాబట్టి మేమూ నవ్వి ఊరుకున్నాం.

అలాంటి మనిషికి కంప్యూటర్ ఆటల పిచ్చి పట్టుకుంది. ఆడే పిచ్చి కాదు, పోగేసే పిచ్చి. తక్కువ ధరకి వస్తే కొనేవాడు, ఊరికే ఇస్తే వదిలేవాడు కాదు. తీరా చూస్తే నెట్‌లో ఏ కంపెనీ కొట్లో తీసుకున్న ఆట ఆ కంపెనీ లాంచర్‌లోనే, అంటే ఆటలు తెరిచే వాళ్ల సొంత ప్రోగ్రాంలోనే తెరుచుకుంటుంది. ఒక్కో లాంచర్‌కి ఒక్కో పాస్‌వర్డు. ఫలానా ఆట ఆడదామని కూర్చుంటే, అది ఏ కొట్లోదో గుర్తొచ్చేసరికి కోరిక చల్లారిపోయేది. ఇల్లు ఒకటే, తాళంచెవులు మాత్రం గుత్తెడు అని బాధపడేవాడు. ఉన్న ఆటనే మరో కొట్లో మళ్లీ కొన్న సందర్భాలూ ఉన్నాయి. చంకలో పిల్లాణ్ణి పెట్టుకుని ఊరంతా వెతకడమంటే ఇదే మరి.

ఈ కొట్లన్నిట్లోని ఆటలనూ ఒకే తెర మీద చూపించే లాంచర్ ఉందని షాపుకొచ్చిన ఒకాయన చెప్పాడు. ఆయనకి కొత్త అద్దాలు ఎప్పుడిచ్చాడో తెలీదు గానీ, బావకి మాత్రం ఆ రోజే కళ్లు తెరుచుకున్నాయి. అన్ని ఖాతాలనూ అందులో కలిపాడు. ప్రతి ఆటకీ ముఖచిత్రంగా ఒక అట్టబొమ్మ వెతికి తగిలించాడు. బొమ్మ వెడల్పు పక్కదానికంటే కాస్త ఎక్కువైతే కత్తిరించాడు. షాపుకి సెలవు రోజు వచ్చిందంటే పొద్దున్నుంచీ అదే పని. మధ్యలో అన్నానికి పిలిస్తే, ఒక్క అర అయిపోగానే వస్తానని అనేవాడు.

అరలు ఆయన పెట్టినవే. మొదటిది ‘ఆడుతున్నవి’. అది ఖాళీ. రెండోది ‘ఆడబోయేవి’. అది కిందికి లాగినకొద్దీ వస్తూనే ఉండేది. ‘పూర్తయినవి’ అనే అరలో ఒకే ఒక్కటి ఉండేది. అది పేకముక్కల ఆట, కంప్యూటర్‌తో పాటే వచ్చింది. చివరిది ‘అరటిపండ్లు’. ఆటలో అరటిపండుగా తిప్పుకునే బుడతడు ఔటైనా ఔటు కాదు, గెలిచినా గెలుపు కాదు కదా. అలా లెక్కలోకి రాని చిన్నాచితకా ఆటలన్నీ అందులో పడేశాడు. పేరు బాగా పెట్టావు బావా అని నేనే మెచ్చుకున్నాను.

నేను డ్రైవింగ్ స్కూల్లో పనిచేస్తాను. పక్క సీట్లో కూర్చుని ఇతరుల తప్పులకి బ్రేకు వెయ్యడం నా ఉద్యోగం. బావ చెయ్యబోయిన తప్పు దగ్గర మాత్రం నా కాలి కింద బ్రేకు లేకపోయింది.

ఇక మా అక్క సంగతి. ఆమెది లిఫ్టుల కంపెనీలో ఫోనెత్తే పని. లిఫ్టు మధ్యలో ఆగిపోతే లోపల ఇరుక్కున్నవాళ్లు ఎర్ర బొత్తాం నొక్కుతారు. అప్పుడు వినిపించేది మా అక్క గొంతే. మెకానిక్కు చేరేదాకా వాళ్లని మాటల్లో పెట్టాలి. కంగారు పడకండి, అక్కడే ఉండండి, మనిషిని పంపించాం వస్తున్నాడు. ఈ మూడు ముక్కలూ రోజంతా చెబుతుంది. ఏడ్చేవాళ్లకీ తిట్టేవాళ్లకీ ఒకటే గొంతు, దూదిలాంటి గొంతు. అక్కడే ఉండక ఎక్కడికి పోతానమ్మా అని ఒకాయన విసుక్కున్నాడట.

ఇంటికొచ్చాక ఆ గొంతు పక్కన పెట్టేసి, కంప్యూటర్ ముందు కాసేపు కూర్చునేది. ఆమెదొకటే ఆట, ఊరు కట్టుకునే ఆట. గెలుపూ ఓటమీ లేవు. ఇళ్లు పెట్టాలి, చెట్లు నాటాలి, దారులు వెయ్యాలి. చిన్న చిన్న మనుషులు వాటిలో తిరుగుతుంటారు. కొన్నేళ్లుగా ఒకే ఊరు కట్టుకుంటూ వచ్చింది. అందులో ఒక్క మేడ కూడా లేదు. మేడ ఉంటే లిఫ్టు కావాలి, లిఫ్టు ఉంటే ఫోను మోగుతుంది అనేది.

ఆ ఊళ్లో మేమందరం ఉన్నాం. అమ్మకి మోకాళ్ల నొప్పులని ఆమె ఇల్లు చదునుగా ఉన్నచోట, కొళాయి పక్కనే పెట్టింది. నాది రొట్టెల దుకాణాన్ని ఆనుకుని ఉండేది, తిండిపోతుకి దూరమెందుకని. పోయిన మా నాన్నకి ఊరి మొదట్లోనే ఇల్లు. వచ్చేపోయేవాళ్లెవరో ముందు ఆయనకే తెలియాలి, బతికినన్నాళ్లూ ఆయన పని అదే. ఆయన గుమ్మం ముందు దారిని కావాలనే వంకర తిప్పింది. అక్కడ ఒక క్షణం ఆగకుండా ఎవరూ పోలేరు. నేను వెళ్లినప్పుడల్లా చూపించేది. బావకి మాత్రం ఆ ఆట నుంచి టింగుటింగుమనే గంటల చప్పుడు తప్ప ఏమీ తెలీదు. ఊరందరి చూపూ సరిచేసే మనిషి ఆ తెర వైపు ఒక్కసారైనా తొంగి చూడలేదు. దీపం కిందే చీకటి.

కలపడం పూర్తయ్యాక బావకి ఆ ఊరి ఆట మూడు చోట్ల కనిపించింది. ఒకటి ఎక్కడో ఉచితంగా ఇచ్చింది, ఒకటి వేరే ఆటలతో పాటు వచ్చింది, ఒకటి ఎప్పటిదో పాతది. ఒకే వస్తువు మూడు చోట్ల ఉండటం బావ భరించలేడు. అట్టబొమ్మ అందంగా ఉన్న కొత్తది ఉంచి మిగతా రెండూ తీసేశాడు. తీసేటప్పుడు కంప్యూటర్ మర్యాదగానే అడిగింది, ఇందులో దాచుకున్నవి కూడా తీసెయ్యాలా అని. తియ్యమన్నాడు. సగం ఊడ్చి సగం వదలడం ఆయన రక్తంలోనే లేదు. మిగిలినదాన్ని అరటిపండ్ల అరలో పెట్టి, చూడ్డానికి రమ్మని నాకు ఫోను చేశాడు.

నేను వెళ్లి అరలన్నీ చూసి ముచ్చట పడుతున్నాను. ఇంతలో అక్క పని నుంచి వచ్చింది. తన ఆట ఎప్పుడూ ఉండే చోట లేదు. అన్నీ ఒకే చోట ఉన్నాయని బావ గొప్పగా చూపించాడు. అరటిపండ్లు అన్న మాట అక్క చదివింది. ఆట తెరిచింది. పక్కన ఏరుతో పచ్చటి ఖాళీ నేల వచ్చింది, కొత్త ఊరు మొదలుపెట్టమంటూ.

"నా ఊరేదండీ?" అంది.

ఎక్కడికీ పోదు, ఇక్కడే ఉంటుందని బావ వెతకడం మొదలుపెట్టాడు. వెతుకుతూ వెతుకుతూ ఆయన చెయ్యి ఆగిపోయింది. నాకు నాన్న ఇల్లు గుర్తొచ్చింది.

"నేనే తీసేశాను. ఉన్నవే మళ్లీ ఉన్నాయనుకున్నాను" అన్నాడు బావ.

అక్క ఖాళీ నేల వైపు చూస్తూ, "పర్వాలేదండి. కంగారు పడకండి" అంది.

అది లిఫ్టు గొంతు. ఇంట్లో ఆ గొంతు నేనెప్పుడూ వినలేదు. తిట్టినా బాగుండేది.

ఆ తర్వాత అక్క కంప్యూటర్ ముందు కూర్చోలేదు. పని నుంచి వచ్చి బాల్కనీలో ఆరిన బట్టలు మడతపెట్టేది, మడతపెట్టినవే మళ్లీ విప్పి మడతపెట్టేది. బావ కంప్యూటర్ డబ్బా మోసుకుని, పోయినవి వెనక్కి తెప్పించే మనిషి దగ్గరికి వెళ్లాడు. ఆ ఖాళీలో ఇంకేవో ఆటలు ఎక్కించేశారు కదా, ఇక రాదని ఆయన చెప్పాడట. ఎక్కించినవి కూడా ‘ఆడబోయేవి’ అరలోవే. ఇన్నేళ్లలో బావ దువ్వెన జరిగినా పట్టించుకోకపోవడం అప్పుడే చూశాను.

ఒకరోజు బావ డ్రైవింగ్ స్కూలుకి వచ్చాడు. బండి నేర్చుకుంటాడేమో అనుకున్నాను.

"మీ అక్క ఊళ్లో ఏమేం ఉండేవిరా?" అని అడిగాడు.

నాకు గుర్తున్నవన్నీ చెప్పాను. అమ్మ ఇల్లు, కొళాయి, రొట్టెల దుకాణం, నాన్న గుమ్మం. విన్నకొద్దీ ఆయన మొహం చిన్నబోయింది. ఇవన్నీ తన ఇంట్లో, తన పక్క కుర్చీలోనే జరిగాయని ఆయనకి అప్పుడే తెలిసింది. మరి నా ఇల్లు అని అడగబోయి ఆగినట్టనిపించింది. అడిగినా నేను చెప్పేవాణ్ణి కాదు. అదెక్కడుండేదో నాకు తెలుసు, చెప్పడానికి నోరు రాలేదు.

ఆ ఆటని అరటిపండ్ల అరలోంచి తీసి ‘ఆడుతున్నవి’లో పెట్టాడు. ఆ అరకి అదే బోణీ. రోజూ షాపు తెరిచే ముందు కూర్చుని కట్టేవాడు. అమ్మ ఇంటి కప్పు ఏ రంగని ఒకసారి, రొట్టెల దుకాణానికి పొగగొట్టం ఉండేదా అని ఒకసారి నాకు ఫోను. నేను ఒక కుర్రదానికి గేరు మార్చడం నేర్పుతూ కప్పుల రంగులు చెప్పేవాణ్ణి. ఆ కుర్రది బండి ఎప్పుడు నేర్చుకుంటుందో గానీ, మా ఊరి ఇళ్లన్నీ ఆమెకి కంఠతా వచ్చేశాయి.

పూర్తయిందని చెప్పి నన్ను రమ్మన్నాడు. ఒక్కడే చూపించడానికి భయమన్నమాట. అక్కని పిలిచి కుర్చీ వేశాడు. అక్క చేతులు తుడుచుకుని కూర్చుంది. తెర మీద ఊరు వచ్చింది.

ఇళ్లన్నీ ఉన్నాయి. కప్పు రంగు ప్రకారం వరసగా ఉన్నాయి. ఎర్ర కప్పులు ఒక వరస, పచ్చ కప్పులు ఒక వరస. దుకాణాలన్నీ ఒక పక్క, చెట్లు పొడవు ప్రకారం. దారులు స్కేలు పెట్టి గీసినట్టున్నాయి. నేను కళ్లు మూసుకున్నాను.

అక్క నవ్వింది. ఆ నవ్వు విని ఎన్నాళ్లయిందో.

"ఇది ఊరు కాదండీ, మీ షాపు" అంది.

అని మౌసు తనే తీసుకుంది. నాన్న వెనక వరసలో కూర్చోలేడంటూ ఆయన ఇంటిని ఊరి మొదటికి తెచ్చింది. గుమ్మం ముందు దారిని వంకర తిప్పింది. అమ్మని కొళాయి దగ్గరికి చేర్చింది, నన్ను తిండికి దగ్గర చేసింది. ఒక్కో వరస చెదిరినప్పుడల్లా బావ వేళ్లు కదిలాయి. చివరికి రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని కూర్చున్నాడు.

"మీ ఇల్లేదీ?" అంది అక్క ఉన్నట్టుండి.

బావ నా వైపు చూశాడు. నేను ఫ్యాను వైపు చూశాను. వీడు చెప్పలేదని గొణిగాడు.

"మీది ఏటి అవతల ఉండేది. వంతెన లేదు."

"ఎందుకు కట్టలేదు?"

"మీరు ఎప్పుడూ ఇటు రాలేదు కదా. లోపల ఏదో సర్దుకుంటున్నారులే అనుకున్నాను" అంది. ఒక చెట్టుని పక్కకి జరుపుతూ, "మీ ఆటల్లో నేను అరటిపండు, నా ఊళ్లో మీరు అరటిపండు. సరికి సరి" అంది.

బావ కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. షాపులో అందరి అద్దాలూ తుడిచే మనిషి, తనవి తుడుచుకోవడం నేనెప్పుడూ చూడలేదు. తర్వాత మౌసు అడిగి తీసుకుని ఒక చిన్న ఇల్లు ఎంచుకున్నాడు. అమ్మ పక్కన చోటుంది, నాన్న పక్కన చోటుంది. అక్కడెక్కడా పెట్టలేదు. ఏరు దాటించి, ఎవరూ లేని ఒడ్డున పెట్టాడు.

"ఇక్కడేనా?" అని అడిగాడు.

అక్క ఆ ఇంటి వైపు చూసింది. తర్వాత ఆయన చేతిలోంచి మౌసు తీసుకుంది.

"కంగారు పడకండి. అక్కడే ఉండండి" అంది, అదే దూది గొంతుతో. మూడో ముక్క నాకు తెలుసు కాబట్టి మనిషిని పంపించాం అంటుందని ఎదురుచూశాను. అక్క ఇటు ఒడ్డు నుంచి ఒక్కో పలకా వేసుకుంటూ పోతోంది.

"నేనే వస్తున్నా" అంది.

వంతెన వంకరగా వచ్చింది. బావ దాన్ని ముట్టుకోలేదు.