సాగనంపని దనీలో

మా చెరకు బస్తీలో ఎవరు పోయినా జపమాల పట్టుకుని ముందు కూర్చునేది నేనే. ఫ్లోరిందా రాకపోతే ప్రాణం పోతుందేమో గానీ ఆత్మ మాత్రం పోదని కుర్రకారు ఎగతాళి చేస్తారు. చెయ్యనీండి. తొమ్మిది రోజుల ప్రార్థన, ఏడాది తిరిగాక ఆత్మను పంపించే సాగనంపు, అన్నీ నా నోటి మీదుగానే నడిచాయి. తాగి కాలవలో పడ్డవాడికి చేశాను, పెళ్ళాన్ని బాదినవాడికి చేశాను, నా కోడిపుంజును కాజేసి కూర వండుకున్న దొంగవెధవకి కూడా కళ్ళు తుడుచుకుంటూ చేశాను. జ్ఞానస్నానం నాడు నా చేతుల్లో మోసిన దనీలోకి మాత్రం చెయ్యనివ్వలేదు. చెయ్యనివ్వలేదు కాబట్టే, చచ్చిపోయిన దనీలో ఆ తర్వాత దేశదేశాల్లో బేస్‌బాల్ ఆడాడు.

అసలు చెప్పాల్సింది వాడి అన్న రదమేస్ గురించి. కాసిల్దాకు వీళ్ళిద్దరే కొడుకులు. మొగుడు చక్కెర మిల్లులోనే పోయాడు. పెద్దవాడు రదమేస్ నెమ్మదస్తుడు, కుడిచేతి వాటం. బలంగానే కొడతాడు గానీ, చూసి ఇంటికొచ్చేసరికి మరచిపోయే ఆట. దనీలో అలా కాదు. ఎడమచేతి వాటం. నిలబడగానే బ్యాటు కొసతో తన కాలి బొటనవేలిని తట్టేవాడు, నాలుక కొస బయటపెట్టేవాడు, బంతి విసిరేవాణ్ణి చూసి నవ్వేవాడు. కొడితే బంతి చెరకు తోటలో పడేది. దాన్ని వెతకడానికి కూడా ఎవరూ వెళ్ళేవారు కాదు. మా శాన్ పెద్రో పట్నం చుట్టుపక్కల పిల్లల్ని ఏరి, తిండిపెట్టి, ఆడించి, అమెరికా జట్లకు బేరం పెట్టే బ్రోకరు మోరెల్ అనేవాడు దనీలోని అప్పటికే పట్టేశాడు. పదహారేళ్ళ కుర్రాడంటే జట్లు ఎగబడతాయి. పంతొమ్మిది దాటినవాడి మొహం కూడా చూడవు. దనీలోకి పదహారు, రదమేస్‌కు పంతొమ్మిది దాటిపోయాయి.

ఆ వేసవిలో దనీలో కొండల్లో ఉన్న మేనత్త ఇంటికి వెళ్ళాడు. జ్వరం తగిలి వారం తిరక్కుండా పోయాడు. అక్కడే పూడ్చిపెట్టారు. కాసిల్దా తిరిగొచ్చి చెప్పులు విప్పకముందే మోరెల్ వాకిట్లో నిలబడ్డాడు.

“ఏడుపు ఆపి నా మాట విను, దోన్యా కాసిల్దా. చిన్నోడు పోయాడు గానీ వాడి కాగితాలు పోలేదు కదా. అన్నదమ్ములిద్దరిదీ ఒకటే మొహం. పెద్దోణ్ణే దనీలో అందాం. రదమేస్ ఏడంటే, దొంగపడవెక్కి ప్వెర్తో రీకో పోయాడందాం. అట్లా పోయినోళ్ళ గురించి ఎవడడుగుతాడు?”

“మరి నా బిడ్డకి ప్రార్థన?” అంది కాసిల్దా.

“పందిరేసి, కుర్చీలు పరిచి, పేరెట్టి ఏడిస్తే ఇంకేముంది? అమెరికా వాళ్ళు ఇల్లిల్లూ తిరిగి అడుగుతారు. ఏ ముసల్దో నోరు జారిందంటే అంతా మట్టికొట్టుకుపోద్ది.”

ఆ ముసల్ది అంటే నేనే. నా ఒళ్ళు మండిపోయింది. వాణ్ణి చీపురు తిరగేసి తరిమాను. కాసిల్దాతో నెత్తీ నోరూ కొట్టుకుని చెప్పాను. “సాగనంపనివాణ్ణి పేరెట్టి పిలవకూడదే. పిలిస్తే వెనక్కి తిరుగుతాడే.”

ఆవిడ నా కాళ్ళు పట్టుకుంది. “కొమాద్రే, నా బిడ్డకి జ్ఞానస్నానపు తల్లివి నువ్వు. పెద్దోణ్ణి జట్టు కాగితాల మీద సంతకం చెయ్యనీ. ఆ మర్నాడే చేద్దాం. ఇద్దర్లో ఒక్కడన్నా చెరకు నరక్కుండా బతకనీ.”

బిడ్డను పోగొట్టుకున్న తల్లి కాళ్ళు పట్టుకుంటే ఎవరైనా ఏమంటారు? బస్తీ బస్తీ అంతా నోరు కుట్టేసుకుంది. పాలు తాగే పిల్లల దాకా అందరూ రదమేస్‌ను దనీలో అనడం మొదలుపెట్టారు. టైలు కట్టుకున్న అమెరికా వాళ్ళు వచ్చి నన్నూ అడిగారు. కాఫీ చల్లారిపోతోంది, తాగండి అన్నాను.

సంతకం అయింది. సాగనంపు కాలేదు. మొదటి ఏడాది గడవనీ అంది కాసిల్దా. తర్వాత పై లీగుకి ఎక్కనీ అంది. ఆ తర్వాత నేను గుర్తుచేస్తే మాట మార్చి చిక్కుళ్ళ ధర గురించి మాట్లాడేది. ఇంట్లో తలుపులేసుకున్నప్పుడు కూడా రదమేస్‌ను దనీలో అనే పిలిచేది. అలవాటైపోయింది.

అమెరికాలో అన్నిటికంటే కింది లీగులో వేశారు వాణ్ణి. మొదటి ఏడాదంతా బెంచీ మీదే కూర్చున్నాడు. ఇక ఇంటికి పంపేస్తారని అనుకుంటుండగా ఆట తిరిగింది. ఎలా తిరిగిందో ఆ చలికాలం ఇంటికొచ్చినప్పుడు నాకే చెప్పాడు. నేను పెరట్లో కర్రపెండలం చెక్కు తీస్తున్నాను.

“దీవించు, మద్రీనా,” అన్నాడు. జ్ఞానస్నానపు తల్లినని అన్నదమ్ములిద్దరూ నన్ను అలాగే పిలిచేవారు.

“దేవుడు నిన్ను దీవించు గాక. ఏంట్రా అట్లా ఈనుపుల్లలా అయిపోయావు? అక్కడ కూడు పెట్టరా?”

“పెడతారు. తింటుంటే నా నోట్లోకే పోతుందో లేదో తెలీడం లేదు.” వాడు నా పక్కన చతికిలబడ్డాడు. “కుడి మణికట్టు వాచింది, మద్రీనా. తీసేస్తారన్న భయంతో ఎడమ పక్కన నిలబడ్డా. జన్మలో నిలబడలేదు అట్లా. అందరూ నవ్వారు. అప్పుడు బ్యాటు నా బొటనవేలిని తట్టింది.”

“నువ్వు తట్టావు.”

“నేను తట్టలేదు. అదే తట్టింది. బంతి వస్తుంటే నాకు నవ్వొచ్చింది. ఆ నవ్వు నాది కాదు.”

ఆ బంతి కంచె దాటి రోడ్డవతల పడిందట. నా చేతిలో కత్తి జారి వేలు తెగింది. వాడు గుడ్డ తెచ్చి కట్టు కట్టాడు. ముడి ఎడమ చేత్తో వేశాడు.

ఆ తర్వాత వాడి బతుకంతా సంచి సర్దుకోవడం, విప్పుకోవడం. అమెరికాలో రెండు మెట్లు ఎక్కాడు, మోకాలు పట్టేసిందని వదిలేశారు. మెక్సికో లీగు పిలిచింది. అక్కణ్ణుంచి తైవాన్, మళ్ళీ మెక్సికో, ఒక వేసవి ఇటలీ, తర్వాత నికరాగువా. చలికాలం వస్తే మా దేశపు లీగు. మా వాళ్ళు చాలామంది ఇలాగే బతుకుతారు, అందులో వింతేం లేదు. వింతల్లా వాడు తిరిగొచ్చి చెప్పే కబుర్లలో ఉండేది.

మెక్సికోలో పూటకూళ్ళావిడ వాడు వచ్చేసరికి ఖాళీ కంచం ఒకటి కడుగుతూ ఉండేదట. “మీ తమ్ముడు తినేసి వెళ్ళాడుగా. ఎంత నవ్వుమొహం!” అనేదట. తైవాన్‌లో వాడితో గది పంచుకోవడానికి ఎవరూ ఒప్పుకోలేదు. నిద్రలో రెండు గొంతులు ఒకదానికొకటి సమాధానం చెప్పుకుంటాయని కెప్టెనుకు ఫిర్యాదు చేశారు. నికరాగువాలో జట్టు బస్సు డ్రైవరు ఎప్పుడు తలలు లెక్కపెట్టినా ఒకటి ఎక్కువ వచ్చేది. ఒకరోజు ఆయనకు ఒళ్ళు మండి, “దిగాల్సినోడు దిగితేనే బండి కదిలేది” అని స్టీరింగు వదిలేసి కూర్చున్నాడు. వెనక సీటు స్ప్రింగు కిర్రుమంది. ఎవరూ లేవలేదు. మళ్ళీ లెక్కపెడితే సరిపోయింది.

“పోయాడనుకున్నా, మద్రీనా. ఏడుపొచ్చింది కూడా,” అన్నాడు రదమేస్. “తర్వాతి ఊళ్ళో బస్సు దిగేసరికి మైదానం మధ్యలో మట్టి మీద కాలిజాడలు. చెప్పుల్లేని కాళ్ళు. వాడే ముందు చేరాడు.”

“నువ్వు పిలవకురా వాణ్ణి.”

“నేనెక్కడ పిలుస్తున్నా? స్టేడియం అంతా పిలుస్తోంది. దనీలో, దనీలో అని వేలమంది. అంతమంది పిలుస్తుంటే పదహారేళ్ళ పిల్లోడు ఎట్లా పోతాడు?”

ప్రార్థనలు బోలెడు తెలుసు నాకు, ఇలాంటి దానికి ఒక్కటీ తెలియదు.

ముప్పై అయిదు వచ్చేసరికి వాడి కుడి చేయి చెంచా కూడా పట్టుకోలేకపోయేది. ఆ ఏడాది చలికాలపు లీగులో వాడి జట్టు ఓడిపోయింది. ఓడిన జట్ల నుంచి పనికొచ్చేవాళ్ళను ఫైనలుకు చేరిన జట్లు ఏరుకోవడం మా దగ్గర రివాజు. రాజధాని జట్టు వీణ్ణి ఏరుకుంది. నిన్నటిదాకా వాణ్ణి అమ్మనా బూతులు తిట్టిన జట్టు చొక్కానే తొడుక్కుని వాడు నా పెరట్లోకి వచ్చాడు.

“సిగ్గులేదట్రా నీకు?” అన్నాను నవ్వుతూ.

“ఎవరి పేరు తొడుక్కున్నా కుదిరినప్పుడు చొక్కాదేముంది?” వాడు నవ్వలేదు. “ఈ ఫైనలే ఆఖరు, మద్రీనా. ఇంక ఏ లీగూ పిలవదు, ఎవడికీ భయపడక్కర్లేదు. వాణ్ణి సాగనంపు. నా పేరు నాకు కావాలి. నేను చచ్చేలోగా మా అమ్మ ఒక్కసారి నన్ను రదమేస్ అనాలి.”

గట్టిగా అడిగింది అదొక్కటే వాడు జన్మలో.

ఫైనల్లో ఆఖరి బంతి వాడే కంచె దాటించాడు. రేడియోలో జనం దనీలో దనీలో అని గొంతులు చించుకుంటుంటే బస్తీలో ఒక్కరూ గంతులెయ్యలేదు. ఆ ఆదివారం మధ్యాహ్నం కాసిల్దా వాకిట్లో పందిరి వేశాం. తెల్ల దుప్పట్లతో మెట్లు మెట్లుగా ప్రార్థన పీఠం అమర్చి, కొవ్వొత్తులు, గ్లాసుతో నీళ్ళు పెట్టాం. పెద్ద గిన్నెతో అల్లం టీ, కాఫీ కాచాం. వచ్చినవాళ్ళు వీధి దాకా కూర్చున్నారు. మోరెల్ కూడా వచ్చాడు, టోపీ తీసి చేతిలో పట్టుకుని.

“ముందు నీ పేరు నువ్వు వెనక్కి తీసుకోవాలి,” అని రదమేస్‌తో చెప్పాను. “వాడి పేరు నీ ఒంటి మీదుండగా నేను సాగనంపితే పోయేది నువ్వే. మీ అమ్మ పిలుస్తుంది, నువ్వు పలుకు. ఆ తర్వాత నేను మొదలుపెడతా.”

కాసిల్దా లేచి నిలబడింది. ఆ పేరు నోట్లోకి రావడానికి చాలాసేపు పట్టింది ఆవిడకు.

“రదమేస్!”

వాడు నోరు తెరిచాడు. అప్పుడు చెరకు తోటలోంచి, అప్పుడప్పుడే గొంతు మారుతున్న కుర్రాడి కేక వినిపించింది.

“వస్తున్నానమ్మా!”

ఎవరి చేతిలోంచో కప్పు పడి పగిలింది. ఆకు కదిలేంత గాలి కూడా లేదు. అయినా చెరకు రెండుగా చీలుతూ ఒక దారి మా వైపుకు వచ్చింది. గట్టు దగ్గర ఆగింది. కాసిల్దా మళ్ళీ పిలిచింది. రదమేస్ పెదవులు కదిలాయి గానీ గొంతు రాలేదు. పలికింది మళ్ళీ గట్టవతలే, ఈసారి దగ్గరగా, నవ్వుతూ.

దేవుడా, నాకు అప్పుడు అర్థమైంది. ఒంటి మీది గుడ్డ లాగేసుకుంటే పిల్లాడు దండెం మీద ఏది వేలాడుతుంటే అది కట్టుకోడా? రదమేస్ అన్న పేరు ఇన్నేళ్ళూ ఎవరూ ముట్టుకోకుండా పడి ఉంది. దనీలో దాన్ని తొడుక్కున్నాడు. అంతే.

రదమేస్‌ను పక్కకు లాగాను. “ఇది నా వల్ల కాదురా. దనీలో పేరు ఇంకా నీ ఒంటి మీదే ఉంది, ఆ పేరుతో సాగనంపితే నువ్వు పోతావు. రదమేస్ అంటే వాడు పోతాడు, నిజమే. కానీ సాగనంపిన పేరు మళ్ళీ బతికున్నవాడికి పెట్టకూడదు. మీ అమ్మ కూడా పిలవకూడదు. ఇంకెప్పుడూ.”

వాడు గట్టు వైపు చూస్తూ ఉండిపోయాడు. “చెప్పుల్లేకుండా ఎన్ని దేశాలు తిరిగాడో చూడు, మద్రీనా. అలిసిపోయుంటాడు. నా పేరుతోనే పంపెయ్.”

“నువ్వడిగింది ఆ పేరొక్కటే కదరా.”

“వాడు అదీ అడగలేదుగా.”

ప్రార్థన మొదలుపెట్టాను. రదమేస్ ఆత్మకు శాంతి అని నేనంటే బస్తీ అంతా తిరిగి అన్నది. కాసిల్దా నేల మీద కూలబడి గుండెలు బాదుకుంది. “రదమేస్! నా తొలిచూలు బిడ్డా! నన్నొదిలి నీళ్ళ మీద పోయావట్రా రదమేస్!” ఇన్నేళ్ళూ ఊరందరికీ చెప్పిన అబద్ధం ఆవిడ లోపల ఎప్పుడో నిజమైపోయింది కాబోలు, అది దొంగేడుపు కాదు. వాడు ట్రే పట్టుకుని వరసలో అందరికీ కాఫీ ఇస్తున్నాడు. తల్లి ఆ పేరు అన్నప్పుడల్లా వాడి అడుగు ఆగేది. ఆవిడ దగ్గరికొచ్చి వంగి కప్పు అందించాడు. “నువ్వన్నా మిగిలావు, దనీలో,” అని ఆవిడ వాడి చెయ్యి ముద్దు పెట్టుకుంది.

దుప్పట్లు ఒక్కొక్కటే తీసి, కొవ్వొత్తులు ఆర్పి, ఇక వెళ్ళు నాయనా రదమేస్ అని మూడోసారి అన్నాను. చెరకులో చీలిన దారి మెల్లగా మూసుకుంటూ అవతలకు వెళ్ళిపోయింది. మర్నాడు వాడు నా పెరట్లో కాఫీ కప్పు కుడి చేత్తో పట్టుకున్నాడు.

ఇప్పుడు మా మైదానంలో పిల్లలకు ఆట నేర్పుతున్నాడు. ఎడమ పక్కన నిలబడి చూపించమంటే చేతకాదంటాడు. అప్పుడప్పుడూ ఎవరో పాత అభిమాని దారిన పోతూ ఆగి, నీకు రదమేస్ అని అన్న ఒకడు ఉండాలే, ఏమయ్యాడని అడుగుతాడు. మేమంతా శిలువ గుర్తు వేసుకుంటాం. అందరికంటే ముందు వాడే వేసుకుంటాడు.

“పోయాడు,” అంటాడు. “మా అమ్మ వాడి కోసం చాలా ఏడ్చింది.”