చీకటి గెడ్డ గుహలో నేను మొహం కడుక్కున్న నీళ్ళు

నా మీద మోపిన అభియోగాన్ని, మోపినవారి మాటల్లోనే ముందు చెబుతాను. "ఉద్దానం కిడ్నీ రోగుల గురించి మూడేళ్ళుగా వేదికలెక్కి ఆవేశపడే ఈ వక్త, మొన్న ఆదివారం అదే ఉద్దానం పక్క కొండల్లోకి గుహలు చూడడానికి జీపెక్కి షికారు వెళ్ళింది. ఆవిడ ఆవేదనకు ఆదివారం సెలవు కాబోలు." విశాఖలో మా విశ్వవిద్యాలయం చర్చావేదికపై ఎప్పుడూ నాకు ఎదురుపక్షాన నిలబడే సహాధ్యాయి ఈ మాట అన్నప్పుడు సభంతా నవ్వింది. నాకిచ్చిన సమయం అప్పటికే ముగిసింది కనుక సమాధానం ఈ బ్లాగులో రాస్తున్నాను. అక్కడికి వెళ్ళాలనుకునేవారికి దారి, వేళ, ఖర్చు కూడా ఇందులోనే దొరుకుతాయి. ఒక్క మాట మాత్రం ముందే చెప్పాలి. ఆయన మోపింది చిన్న నేరం. ఆ రోజు నేను చేసిన పెద్ద నేరం ఆయనకు తెలియదు.

మాది టెక్కలి. ఉద్దానం గురించి నాకు తెలిసిందంతా పత్రికల కత్తిరింపుల్లోంచి, గ్రంథాలయంలో దొరికిన నివేదికల్లోంచి తెలిసిందే. అక్కడి జబ్బుకు కారణం నీళ్ళా, నేలా, మరొకటా అన్నది ఇంకా ఎవరూ తేల్చలేదని గడగడా చెప్పగలను గాని, కవిటి వైపు ఒక్క ఇంటి గడపైనా తొక్కినదాన్ని కాను. పరీక్షలయ్యాక ఫిబ్రవరిలో ఇంటికి వచ్చినప్పుడు, పలాసలో ఉండే నా హాస్టలు స్నేహితురాలు సుజాత ఫోన్ చేసింది. మందస దాటాక మహేంద్రగిరి దిగువ కొండల్లో చీకటి గెడ్డ అనే వాగు కొండను నిలువునా కోసుకుంటూ పారుతుందని, ఆ ఇరుకు లోయ చివర ఒక గుహ ఉందని, ఆదివారాల్లో ఒకాయన జీపులో తీసుకెళ్ళి చూపిస్తాడని చెప్పింది. నేను వెంటనే ఒప్పుకున్నాను. కారణం గొప్పదేమీ కాదు. ఒక్క రోజు ఎవరితోనూ వాదించకుండా గడపాలనిపించింది.

ముందురోజు సాయంత్రమే బస్సెక్కి పలాస చేరి సుజాత ఇంట్లో పడుకున్నాను. పొద్దున్న ఆరున్నరకు కాశీబుగ్గలో జీపు సిద్ధంగా ఉంది. తోలేవాడు, దారి చూపేవాడు ఒక్కరే. పేరు కూర్మయ్య. యాభై దాటిన మనిషి, తెల్ల చొక్కా, మోకాళ్ళ పైకి మడిచిన లుంగీ. మాతోపాటు విశాఖ నుంచి వచ్చిన ముగ్గురు బ్యాంకు ఉద్యోగులు ఎక్కారు. వారిలో పెద్దాయన మూర్తిగారు. రోజంతటికీ తలకు మూడు వందలు. వెనక సీటు కింద రెండు చిన్న ఖాళీ ప్లాస్టిక్ క్యాన్లు దొర్లుతూ నా మడమలకు తగులుతుంటే, డీజిలు కోసమేమో అనుకున్నాను. గుంత వచ్చినప్పుడల్లా కూర్మయ్య వెనక్కి తిరిగి మమ్మల్ని కాకుండా వాటిని చూసుకునేవాడు.

ఏడున్నరకు మందసలో ఇడ్లీలు తిని బయలుదేరాం. అక్కడి నుంచి జీడితోటలు వెనకబడి కొండలు దగ్గరవుతాయి. తారురోడ్డు అయిపోయి ఎర్రమట్టి దారి మొదలవుతుంది. ఎనిమిదిన్నరకు కొండ కింద సవర గిరిజనుల గూడ దగ్గర జీపు ఆగింది. మధ్యాహ్నం భోజనం అక్కడే చెప్పుకోవాలి. పొయ్యి ముందు కూర్చున్న ఒక ముసలమ్మ మమ్మల్ని లెక్కపెట్టి, "చోడి అంబలి తాగుతారా, అన్నమే గావాలా?" అని అడిగింది. మూర్తిగారు అన్నం అన్నారు. "ఎక్కినప్పుడు అందరూ అన్నమే అంటారు. దిగినాక అంబలే అడుగుతారు," అని ఆమె చోడిపిండి, అంటే రాగిపిండి, డబ్బా దగ్గరకు జరుపుకుంది.

గూడ నుంచి గంటన్నర నడక. కూర్మయ్య రెండు క్యాన్లను తాడుతో కట్టి భుజాన వేసుకుని ముందు నడిచాడు. లోయలోకి అడుగుపెట్టాక మాటలు వాటంతటవే తగ్గాయి. రెండు పక్కలా నల్లరాతి గోడలు. చేతులు చాపితే రెండింటినీ తాకగలిగినంత ఇరుకు కొన్నిచోట్ల. పైన ఆకాశం ఒక సన్నని గీత. కాళ్ళ కింద చీలమండ లోతు నీళ్ళు, పాచి పట్టిన గుండ్లు. ఎండ ఆ గోడల మీద జానెడు మేర మాత్రమే దిగుతుంది. ఎన్ని వేల ఏళ్ళు పడితే ఇంత చిన్న వాగు ఇంత రాతిని కోస్తుంది అన్న ప్రశ్న ఎవరికైనా వస్తుంది. నాకూ వచ్చింది. గట్టిగా అరవకుండా, ఎవరినీ ఒప్పించాలని చూడకుండా తన పని తాను చేసుకుపోయిన ఆ నీటిని చూసి కొంచెం సిగ్గుపడ్డాను కూడా. ఆ సిగ్గు మరో అరగంటైనా నాతో ఉండి ఉంటే బాగుండేది.

పదిన్నరకు గుహ ముందుకు చేరాం. నిలబడి వెళ్ళగలిగినంత ఎత్తు, లోపలంతా చీకటి. కూర్మయ్య మమ్మల్ని ఆపాడు.

"ముందు నానెల్తాను. నాను పిలిసినాక మీరు రండి."

"ఎందుకు మావా?" అన్నాను.

"ఎప్పుడూ అలగే తల్లీ."

"పాములున్నాయా?"

"నేవు."

"మరి?"

ఆయన చెప్పులు విప్పి పక్కన పెట్టాడు. ఆ విప్పడం చూశాక నాకు విషయం అర్థమైపోయిందనుకున్నాను. ఏదో మొక్కు, ఏదో మైల, మగవాడు ముందు అడుగు వేయాలన్న నియమం. మూర్తిగారితో, "కారణం చెప్పలేని ఆచారానికి లొంగడమంటే ఆలోచన మానుకోవడమే," అన్నాను. వాక్యం బాగా కుదిరింది. కుదిరిన వాక్యం నన్ను ఎప్పుడూ ముందుకు తోస్తుంది. కూర్మయ్య క్యాన్ల తాడు విప్పుకుంటూ ఉండగా, నేను బురద చెప్పులతోనే, చేతిలో టార్చితో లోపలికి నడిచాను. సుజాత వెనక నుంచి పిలిచింది. ఆగలేదు.

ఇరవై అడుగుల లోపల గోడవారగా ఒక రాతి తొట్టి ఉంది. పైన మూడు చీలికల్లోంచి బొట్లు బొట్లుగా ఊట పడుతోంది. తొట్టి నిండా నీళ్ళు, అడుగున గులకరాళ్ళు లెక్కపెట్టగలిగినంత స్వచ్ఛంగా. అడుగు పెట్టకూడదన్న చోట అడుగు పెట్టానని నిరూపించుకోవడానికి, బురద చేతులు రెండూ మోచేతుల దాకా అందులో ముంచి మొహం కడుక్కున్నాను. రెండుసార్లు పుక్కిలించి అందులోనే ఉమ్మాను.

వెనక్కి తిరిగేసరికి కూర్మయ్య క్యాన్లతో నిలబడి ఉన్నాడు. ఆయన నన్ను తిట్టలేదు. టార్చి తీసుకుని తొట్టిలోకి చూశాడు. బురద నిదానంగా అడుగుకు దిగుతోంది.

"ఈ తొట్టి నిండడానికి ఒక పగలూ రాత్రీ పడతాది," అన్నాడు. టార్చి నా చేతికి తిరిగిచ్చి, "మా ఆడది ఈ నీలే తాగుతాది," అన్నాడు.

ఆయనది కవిటి వైపు ఊరు. కొబ్బరితోట ఉంది. భార్య రవణమ్మకు రెండేళ్ళుగా కిడ్నీ జబ్బు. ఊరి బోరు నీళ్ళు ఆమెకు గొంతు దిగవు. ఆదివారం ఈ రెండు క్యాన్లు పట్టుకెళ్తే మళ్ళీ ఆదివారం దాకా సరిపోతాయి. జీపు మనుషుల కోసం నడుస్తోందని మేమనుకున్నాం. అది నీళ్ళ కోసం నడుస్తోంది. మేము దాని డీజిలు ఖర్చు.

"ముందే చెప్పొచ్చు కదా మావా," అన్నాను.

"సెప్తే ఏటౌద్ది? అయ్యో అంటారు. దిగేదాకా అయ్యో అంటానే ఉంటారు. నాకు జీపు తోలడం పని గాని, అయ్యోలు మొయ్యడం కాదు తల్లీ."

ఆయన తొట్టిలో నీళ్ళన్నీ కొబ్బరి చిప్పతో తోడి బయట పారబోశాడు. ఒక వారం నీళ్ళు రాళ్ళ మధ్య నుంచి వాగులో కలిసిపోవడం నేను నిలబడి చూశాను. మూర్తిగారు తన సీసా చాపారు. "ఇది మినరల్ వాటర్, తీసుకో."

"ప్లాస్టిక్కు వాసనంటాది బావూ. తాగదు."

ఇక మిగిలింది ఊట కింద క్యాను పెట్టి ఎదురుచూడడమే. బ్యాంకువారికి సోంపేటలో సాయంత్రం ప్యాసింజరు ఉంది. ఆలస్యమైతే ఎలా అని వారిలో ఒకాయన మొదలుపెట్టాడు. నేను లేచాను. తప్పు నాదని, రైలు రేపూ ఉంటుందని, రోగి గొంతుకు రేపు అనే వాయిదా ఉండదని వాదన కడుతున్నాను. నాలుగో వాక్యం దగ్గర కూర్మయ్య చెయ్యెత్తాడు.

"నువ్వాగు తల్లీ. సప్పుడు ఇనాల. ఏ సీలికలో ఎక్కువ పడతన్నాదో ఇనాల."

అందరం నోరు మూశాం. చీకట్లో మూడు చప్పుళ్ళు విడివిడిగా వినిపించాయి. ఒకటి వేగంగా, ఒకటి ఆగి ఆగి, ఒకటి దాదాపు ఆలోచించుకుని పడుతున్నట్టు. మూర్తిగారు తన స్టీలు టిఫిన్ డబ్బా మూత తెచ్చి మూడో చీలిక కింద పట్టుకున్నారు. రైలు గురించి మొదలుపెట్టినాయన రెండో మూత పట్టుకున్నాడు. వంతులవారీగా రెండున్నర గంటలు అలా నిలబడ్డాం. చర్చావేదికలపై నేను గెలిచిన బహుమతులన్నీ కలిపినా ఒక్క మనిషినైనా ఇంతగా కదిలించానని చెప్పలేను. ఇక్కడ కదిలించింది నా వాదన కాదు. మధ్యాహ్నం రెండుకు లేచేసరికి ఒక క్యాను సగానికి వచ్చింది. రెండోది ఖాళీ.

దిగాక గూడలో ముసలమ్మ మమ్మల్ని చూసి నవ్వింది. అందరం అంబలే తాగాం, ఎండుచేప వేపుడు నంజుకుని. ఐదుకు సోంపేటలో బ్యాంకువారిని రైలుకు దింపాం. మూర్తిగారు దిగుతూ క్యాను మూత మళ్ళీ ఒకసారి బిగించారు. సుజాతను, నన్ను బస్టాండులో దింపబోతుంటే, మీ ఇంటికి వస్తాను మావా అన్నాను. తప్పు ఒప్పుకోవడానికి అన్నాను. నిజం చెప్పాలంటే ఇంకో కారణం కూడా ఉంది. ఈ జబ్బులో కొందరు నీళ్ళు కొలతకు మించి తాగకూడదని నేను చదివాను. మంచి నీళ్ళు దొరికాయని ఆమె క్యాన్లకు క్యాన్లు తాగుతోందేమోనని భయమేసింది. చెప్పడం నా బాధ్యత అనిపించింది.

అరగంటలో కొబ్బరితోటల మధ్య ఇంటికి చేరాం. రవణమ్మ వాకిట్లో మంచం మీద కూర్చుని ఉంది. కాళ్ళు వాచి ఉన్నాయి. కళ్ళు మాత్రం చురుగ్గా ఉన్నాయి. కూర్మయ్య క్యాను దించి, జరిగింది రెండు ముక్కల్లో చెప్పాడు. ఆమె నన్ను పైనుంచి కిందికి చూసింది.

"ఈ పిల్లేనా? నా వారం నీలతో మొకం కడుక్కున్నావా? ఏదీ, ఇటు తిరుగు. సూడు మావా, కొంచెం తెల్లబడ్డాదేటి?"

సుజాత పక్కున నవ్వింది. నేను క్షమించమని అడిగి, ఊపిరి పీల్చుకుని, చెప్పదలచుకున్నది మొదలుపెట్టాను. ఈ స్థితిలో నీరు ఎక్కువగా తాగితే కాళ్ళ వాపు, ఆయాసం, ఇంకా... ఆమె వింటూనే మంచం కింద నుంచి ఒక ఇత్తడి చెంబు తీసి నా చేతికిచ్చింది. లోపల సగం కంటే తక్కువ ఎత్తులో గోళ్ళ రంగుతో ఎర్రగా ఒక గీత గీసి ఉంది.

"డాక్టరు సెప్పినాడు. పొద్దున్నొక తడవ, సాయంత్రమొక తడవ, ఈ గీత దాకా. రెండేళ్ళయ్యింది, ఒక్క నాడూ గీత దాటనేదు. కాసి సల్లార్సుకునే తాగుతాను. ఈ నీలు జబ్బు తగ్గించవని నాకూ తెలుసు తల్లీ." ఆమె చెంబు వెనక్కి తీసుకుంది. "తాగేదే ఇంత. ఈ ఇంతైనా తియ్యగుండాల గదా."

ఏ నివేదికలోనూ నేనీ వాక్యం చదవలేదు. చదివి ఉన్నా, దాన్ని వేదిక మీద చప్పట్ల కోసం ఎక్కడ వాడాలా అని ఆలోచించి ఉండేదాన్ని. ఆ క్యానులో ఉన్నవి రెండు రోజుల నీళ్ళు. మిగిలిన ఐదు రోజులు ఆమె బోరు నీళ్ళే ఆ గీత దాకా తాగింది. ఆ ఐదు రోజులు నావి.

దీని గురించి రాయవచ్చా అని వెళ్ళేటప్పుడు అడిగాను. "రాసుకో. మా ఊరి పేరు రాయకు. అయ్యో అనుకుంటా జీపులేసుకొని వొచ్చెత్తారు. తొట్టి సంగతి మాత్రం రాయ్," అంది. అందుకే ఊరి పేరు ఇందులో లేదు.

వెళ్ళదలచుకున్నవారికి ఉపయోగపడే మాటలు కొన్ని ఉన్నాయి. నవంబరు నుంచి ఫిబ్రవరి వరకు వెళ్ళండి. వానల్లో ఆ లోయ మనిషిని నిలవనివ్వదు. పాచి మీద పట్టు ఉండే రబ్బరు చెప్పులు వేసుకోండి, వాటిని గుహ ముందు విప్పండి.

ఇక అభియోగం సంగతి. షికారు వెళ్ళాను, ఒప్పుకుంటున్నాను. ఆ షికారే లేకపోతే, ఉద్దానం గురించి ఇంకో మూడేళ్ళు అదే ఆవేశంతో, ఒక్క చెంబునూ చూడకుండా మాట్లాడుతూ ఉండేదాన్ని. ఇక నేను దోషినో కాదో తేల్చుకోవడం మీ వంతు, ఏ తీర్పైనా తలవంచుతాను. కానీ మీలో ఎవరు ఆ గుహ ముందు నిలబడినా, క్యాన్లు భుజాన వేసుకున్న ఆ మనిషిని ముందు వెళ్ళనివ్వండి. ఆయన పిలిచేదాకా ఆగండి. కారణం అడగకండి.